లేచిన గోరు మీద ఫెవిక్విక్ వద్దు

ప్రశ్నలు - జవాబులు

జెల్ గోళ్లు హైదరాబాద్‌లో ఆగలేదు. 65వ నంబర్ జాతీయ రహదారి పట్టుకొని చిట్యాల, నార్కట్‌పల్లి, కట్టంగూర్, నకిరేకల్ దాకా వచ్చేశాయి. వాటి వెనకే వాటి తిప్పలూ వచ్చాయి. ఈసారి అందిన ఉత్తరాల్లో చాలావరకు ఒకటే గోడు: డబ్బు పోసి పెట్టించుకున్న గోరు లేస్తోంది.

ప్రశ్న: మేడమ్, నేను కట్టంగూర్‌ల చిన్న పార్లర్ నడుపుతున్న. జెల్ ఎక్స్‌టెన్షన్ కోర్సు చేసి వచ్చిన. వారం పది రోజులకే గోరు మొదట్ల తెల్లగ లేచిందని కస్టమర్లు తిరిగొస్తున్నరు. జెల్ కంపెనీ మార్చి చూసిన. ప్రైమర్ కూడ ఎక్కువే పెడుతున్న. అయినా ఆగుతలేదు. ఏం చెయ్యాలె?
- పార్లర్ నడిపే సోదరి, కట్టంగూర్

జవాబు: జెల్ మార్చడం ఇక్కడితో ఆపండి చెల్లెమ్మా. ముందు మీ దగ్గర పెట్టించుకున్న అందరికీ లేస్తోందా, కొందరికేనా చూడండి. అందరికీ లేస్తే తప్పు మన చేతిలో ఉంది. ఒకరిద్దరికే లేస్తే వాళ్ల చేతి పనిలో ఉంది. మీరు రాసినదాన్ని బట్టి మొదటిదే అనిపిస్తోంది.

ఎక్కడ లేచిందో చూస్తే ఎందుకు లేచిందో సగం తెలిసిపోతుంది. మొదట్లో, అంటే చర్మం ఆనుకొని ఉన్న చోట లేస్తే ముందుగా రెండు అనుమానాలు: గోటి మీద సన్నటి పొర మిగిలిపోయిందా, జెల్ చర్మం మీదికి పారిందా. పక్కల్లో లేస్తే టిప్ సైజు చిన్నదై ఉంటుంది, లేదా ఆ మూలల్లో ఫైల్ తగిలి ఉండదు. కొసన లేస్తే, కొస అంచును జెల్‌తో మూయలేదనో పొడవు ఎక్కువైందనో అర్థం. మొత్తం గోరు పెంకులాగా ఊడి వస్తే నూనె, తడి, లేదా ల్యాంపులో సరిగ్గా గట్టిపడని జెల్. ఎప్పుడూ కుడిచేతి బొటనవేలు, చూపుడువేలే లేస్తుంటే అది ఆమె అలవాటు. డబ్బా మూతలు, గ్యాస్ సిలిండర్ సీలు, స్టిక్కర్లు గోటితోనే లాగుతుందన్నమాట.

మీ సమస్య మొదట్లో ఉంది కదా. క్యూటికల్ అనే మాటతో మనవాళ్లు రెండు వేర్వేరు వాటిని పిలుస్తారు. గోరు మొదట్లో మడతగా కనిపించే చర్మం ప్రాణమున్నది, దాన్ని కత్తిరించకూడదు. దాని కింది నుంచి గోటి మీదికి పాకి అతుక్కుని ఉండే పలచటి చచ్చిన పొర ఇంకొకటి, తీయాల్సింది దాన్ని. అది మామూలు వెలుతురులో కనపడదు. పుషర్‌తో మడతను నెమ్మదిగా వెనక్కి నెట్టి, పక్కనుంచి లైటు వేసి చూస్తే గోటి మీద మసక గీతలా తెలుస్తుంది. దాన్ని వదిలేసి పైన జెల్ వేస్తే, జెల్ గోటికి కాదు, ఆ పొరకు అంటుకుంటుంది. గోరు పెరిగేకొద్దీ పొర ఊడుతుంది, దానితోపాటే జెల్ కూడా.

ఎక్కడ లేచినా చూసుకోవాల్సింది ఇంకొకటి, వేడినీళ్ల టబ్బు. మానిక్యూర్ చేసి వెంటనే ఎక్స్‌టెన్షన్ మొదలుపెట్టడం చాలా పార్లర్లలో ఉన్న అలవాటు. గోరు నీళ్లు పీల్చి ఉబ్బుతుంది, ఆరాక తగ్గుతుంది. ఉబ్బిన గోటి మీద గట్టిపడిన జెల్ అలాగే ఉండిపోతుంది, కింద గోరు మాత్రం తగ్గిపోతుంది. కాబట్టి జెల్ రోజున అంతా పొడిగానే చేయండి. కస్టమర్ పొద్దున తలకు కొబ్బరినూనె పెట్టుకొని వచ్చిందేమో కూడా అడగండి. సబ్బుతో కడిగించి, బాగా తుడిచి, కొంతసేపు ఆరనిచ్చి మొదలుపెట్టండి.

గోటి మెరుపు పోయేదాకా 180 గ్రిట్ ఫైల్‌తో తేలిగ్గా రుద్దితే చాలు. అంతకన్నా గరుకు ఫైల్ అసలు గోటిని తాకకూడదు. రుద్దితే బాగా పడుతుందని గోటిని పలచబరిస్తే అది వంగుతుంది. వంగే గోటి మీద గట్టి జెల్ నిలవదు. దుమ్ము బ్రష్‌తో తీసి, నూలుపోగు వదలని గుడ్డతో తుడిచాక ఆ గోటిని వేలితో ముట్టకండి. గోటి తడి తీసే డీహైడ్రేటర్ తర్వాత ప్రైమర్ తడి మెరుపు లేకుండా, పలచగా ఉండాలి. మీరు ఎక్కువ పెడుతున్నానన్నారు, అది మేలు చేయదు, పైగా కీడు. బేస్ జెల్‌ను పలచగా, గోటిలోకి రుద్దుతున్నట్టు వేయండి. చర్మానికి వెంట్రుకంత ఎడం వదలండి. పారితే ల్యాంపులో పెట్టకముందే సన్నటి పుల్లతో తీసేయండి. గట్టిపడ్డాక తీయడం అంటే లేపడమే.

ల్యాంపు మాటకొస్తే, 36 వాట్లు, 48 వాట్లు అని డబ్బా మీద ఉన్న అంకెకు మోసపోకండి. ఆ జెల్‌లోని రసాయనానికి సరిపడే కాంతి ఆ ల్యాంపు ఇవ్వాలి. వీలైతే జెల్ కంపెనీ చెప్పిన ల్యాంపే వాడండి. మందంగా ఒక్కసారే వేస్తే పైన గట్టిపడి లోపల మెత్తగా మిగులుతుంది. బొటనవేలు నాలుగు వేళ్లతో కలిపి పెడితే పక్కకు ఒరిగి ఒకవైపు కాంతి అందదు, దాన్ని విడిగా పెట్టండి. మధ్యలో కరెంటు పోతే, వచ్చాక పూర్తి సమయం మళ్లీ ఇవ్వండి.

చివరగా, పొడవు. బాసన్లు తోమే చేతులకు, పత్తి ఏరే చేతులకు, కలుపు తీసే చేతులకు ఇన్‌స్టాగ్రామ్ పొడవు పెట్టి పంపడం వాళ్ల డబ్బు పారబోయించడమే. కొస ఎంత పొడవైతే మొదట్లో అంత లాగుడు పడుతుంది. గోటి అసలు పొడవులో సగానికి మించకుండా పెట్టండి. ‘చిన్నగుంది’ అని మొహం ముడుచుకుంటే ముడుచుకోనివ్వండి.

ప్రశ్న: నేను డిగ్రీ చదువుతున్న. చిటికెనవేలు గోరు ఒక పక్క లేచింది. తల దువ్వుకుంటే వెంట్రుకలు అందుల ఇరుక్కుంటున్నయ్. ఈ నాలుగు రోజులల్ల మా అక్క పెళ్లి. ఫెవిక్విక్ ఏసి అతికిస్తే ఆగుతదా?
- అయిటిపాముల

జవాబు: ఆగుతుంది, నాలుగు రోజులు. ఆ తర్వాతే అసలు బాధ. లేచిన సందులో అప్పటికే నీళ్లు, సబ్బు, దుమ్ము చేరి ఉంటాయి. పైన జిగురు వేస్తే వాటిని లోపలే పెట్టి తలుపు మూసినట్టు. అది గట్టిపడ్డాక గోటితోపాటు వంగదు కూడా. ఇంకో ప్రమాదం ఉంది, పత్తి పండే మన నల్గొండ జిల్లాలో ఇది అందరికీ తెలిసి ఉండాలి: ఈ రకం జిగురు దూదికి, నూలు బట్టకు తగిలితే ఒక్కసారిగా వేడెక్కుతుంది, చర్మం కాలేంత. ఒలికిందని దూదితో తుడవబోయి వేలు కాల్చుకోకమ్మా.

అతికించడం కాదు, లేచిన భాగాన్ని తీసేయడమే రిపేరు. పార్లర్‌లో చేయించుకోవడం మంచిది. లేచిన చోట జెల్ కింద గాలి ఉండి తెల్లగా కనిపిస్తుంది. అతుక్కుని ఉన్న చోట గోటి రంగు గులాబీగా తెలుస్తుంది. ఆ రెండూ కలిసే గీత దాకా జెల్‌ను ఫైల్‌తో అరగదీయాలి, పైకి లాగకూడదు. లాగితే గోటి పై పొరలు కూడా పెచ్చుగా వచ్చేస్తాయి. గీత కనపడకుండా నున్నగా అయ్యాక, బయటపడిన గోటిని శుభ్రం చేసి, డీహైడ్రేటర్, ప్రైమర్, బేస్, దాని మీద బిల్డర్ జెల్ నింపి, ఆకారం తెచ్చి, టాప్ కోట్. గోటిలో మూడో వంతుకు మించి లేచి ఉంటే ఈ అతుకుల పని వద్దు, ఆ ఒక్క గోరు పూర్తిగా తీసి కొత్తగా పెట్టించుకోవాలి.

ఇది నలుగుకు ముందే కానివ్వు. పసుపూ నూనే ఆ సందులోకి పోయాక తుడిచి తీయడం ఎవరితరమూ కాదు. పార్లర్‌కు వెళ్లేదాకా పొడవు తగ్గించి, గీసుకునే అంచును ఫైల్‌తో నున్నగా చేసి, నీళ్ల పని చేసేటప్పుడు గ్లౌజ్ తొడుక్కో. వెంట్రుక ఇరుక్కోవడాన్ని ఇకముందు కూడా హెచ్చరికగానే తీసుకో, కంటికి తెలియకముందే అది లేవడాన్ని పట్టిస్తుంది.

పెట్టించుకొని ఎన్ని వారాలైందో నువ్వు రాయలేదు. చేతిగోరు నెలకు సుమారు 3 మిల్లీమీటర్లు పెరుగుతుంది. గోరు పెరిగేకొద్దీ జెల్ బరువంతా ముందుకు జరుగుతుంది. అందుకే రెండు మూడు వారాలకోసారి ఇన్‌ఫిల్, అంటే పెరిగిన చోట జెల్ నింపడం, చేయించుకోవాలంటారు. పార్లర్ వాళ్ల బేరం కాదది.

ప్రశ్న: మా బోరు నీళ్లల్ల ఫ్లోరైడ్ ఉంది. జెల్ గోరు లేసుడు దాని వల్లనేనా?
- గృహిణి, కట్టంగూర్ మండలం

జవాబు: నీళ్లలోంచి ఫ్లోరైడ్ తీసే పద్ధతికే ‘నల్గొండ టెక్నిక్’ అని పేరు పెట్టేంతగా మన జిల్లాను ఏడిపించింది కాబట్టి అనుమానం సహజం. కానీ అది తాగితే పళ్లనూ ఎముకలనూ పాడుచేసేది. గోటి విషయంలో దాన్ని వదిలేయండి. ఏ నీళ్లైనా సరే, గంటలకొద్దీ నానడమే కారణం, దానికి సర్ఫు, బాసన్ల సబ్బు తోడు. గ్లౌజ్ తొడగండి. రాత్రి పడుకునేముందు గోటి మొదట్లో చుక్క నూనె రాస్తే మంచిదే. పెట్టించుకునే రోజు మాత్రం రాయకండి.

ప్రశ్న: లేచిన జెల్ కింద గోరు ఆకుపచ్చగా అయింది. మెడికల్ షాపుల ఫంగస్ క్రీమ్ ఇచ్చిండ్రు. రాస్తున్న, తగ్గుతలేదు.
- నకిరేకల్

జవాబు: తగ్గదు. ఆకుపచ్చ రంగు సాధారణంగా ఫంగస్‌ది కాదు, సూడోమోనాస్ అనే బ్యాక్టీరియా వదిలే రంగు. తడి, చీకటి సందు దొరికితే అది స్థిరపడిపోతుంది. దానికి ఫంగస్ మందు పనిచేయదు. ముందు ఆ గోటి మీది జెల్ మొత్తం తీయించాలి, గోటిని పొడిగా ఉంచాలి. రంగు తుడిస్తే పోదు, గోరు పెరుగుతూ నెలల మీద కొసకు వెళ్లి పోతుంది. అందాకా ఆ వేలికి జెల్ వద్దు, రంగు కనపడకుండా పైన నెయిల్ పాలిష్ కూడా వద్దు. నొప్పి, వాపు, చీము ఉన్నా, మీకు షుగర్ ఉన్నా ఆలస్యం చేయకుండా చర్మ డాక్టర్‌కు చూపించండి. నార్కట్‌పల్లిలోనూ నల్గొండలోనూ మెడికల్ కాలేజీ ఆసుపత్రులున్నాయి. మీ గోటికి వాడిన ఫైల్‌ను పారేయమని పార్లర్‌లో చెప్పండి. చెప్పడానికి మొహమాటపడితే అది ఇంకొకరి గోటి మీదికి పోతుంది.

ప్రశ్న: ఆన్‌లైన్‌ల జెల్ కిట్ తెప్పించుకొని ఇంట్లనే పెట్టుకుంటున్న. ఇప్పుడు వేళ్ల కొసలు దురద, చిన్న చిన్న నీటి పొక్కులు. కనురెప్పలు కూడ వాస్తున్నయ్. రెండు రోజులాగి మళ్ల పెట్టుకోవచ్చా?
- చిట్యాల

జవాబు: పెట్టుకోవద్దు. రెండు రోజులకు కాదు, డాక్టర్ చెప్పేదాకా. మీరు రాసింది మెథాక్రిలేట్ అలర్జీ లక్షణాల్లా ఉంది. గట్టిపడని జెల్ చర్మానికి పదే పదే తగిలితే వస్తుంది. చెయ్యి కంటికి వెళ్తుంది కాబట్టి రెప్పలు వాస్తాయి. ఒకసారి శరీరం ఆ రసాయనాన్ని పగబట్టిందంటే సాధారణంగా జీవితాంతం మరచిపోదు. పళ్లకు వేసే కొన్ని ఫిల్లింగులు, ఎముకల ఆపరేషన్‌లో వాడే సిమెంటు కూడా ఇదే కుటుంబానివి. అందుకే అలర్జీ అని తేలితే దంతవైద్యుడికి కూడా చెప్పాల్సి ఉంటుంది. అమెరికాలో ఈ అలర్జీలు చూసే డాక్టర్ల సంఘం 2012లోనే ఈ అక్రిలేట్ల కుటుంబాన్ని ఆ ఏటి అలర్జీ కారకంగా ప్రకటించింది.

మీ కిట్ డబ్బా మీద హేమా (HEMA) అనే మెథాక్రిలేట్ పేరుందేమో చూడండి. యూరోపియన్ యూనియన్‌లో 2021 నుంచి దాన్ని గోళ్లకు వృత్తి నిపుణులు మాత్రమే వాడాలని నిబంధన పెట్టారు. జెల్‌లో వాడే టీపీవో (TPO) అనే ఇంకో పదార్థాన్ని 2025 సెప్టెంబర్ 1 నుంచి అక్కడి సౌందర్య సాధనాల్లో పూర్తిగా నిషేధించారు. హేమా లేదని రాసి ఉన్నా నిశ్చింత పడకండి, ఆ కుటుంబంలో వేరేవి ఉంటాయి.

పైన కట్టంగూర్ చెల్లెమ్మకు చెప్పిందీ మీకు చెప్పేదీ చివరికి ఒకే చోటికి వస్తాయి: చర్మం మీదికి పారిన జెల్, ల్యాంపులో సగమే గట్టిపడిన జెల్. గోరు లేవడానికీ అవే దారి, అలర్జీకీ అవే. పార్లర్ సోదరీమణులు మరీ జాగ్రత్తగా ఉండాలి. కస్టమర్‌కు నెలకు ఒకటి రెండుసార్లే, మీకు రోజూ. లేటెక్స్ గ్లౌజ్ దీన్ని ఆపదు. నైట్రైల్ మేలు, కానీ జెల్ అంటిన వెంటనే మార్చాలి. ఫైల్ చేసిన దుమ్మును నోటితో ఊదకండి.

ప్రశ్న: జెల్ గోళ్ల మీద గోరింటాకు పెట్టుకుంటే పండుతదా?
- సూర్యాపేట

జవాబు: జెల్ మీద పండదు, మరకలా పడితే పడుతుంది. ఆషాఢంలోనో బతుకమ్మకో గోరింటాకు ముందు పెట్టుకోండి, రెండు రోజులాగి గోళ్లు. కోన్లలో నీలగిరి తైలం లాంటి నూనెలు కలుపుతారు, అవి గోటి మీద మిగిలితే జెల్ పట్టదు.

ప్రశ్న: నాకు ఎనిమిదో నెల. ఆసుపత్రిల గోళ్లు తీసేసి రమ్మన్నరు. లేవకుండా మంచిగనే ఉన్నయ్, తియ్యకుంటె నడవదా?
- నార్కట్‌పల్లి

జవాబు: తీయించుకోండి అమ్మా. వేలికి క్లిప్పు పెట్టి రక్తంలో ఆక్సిజన్ చూస్తారు కదా, ఆ కాంతి గోటిలోంచే పోవాలి. అవసరమైతే డాక్టర్లు గోటి రంగు కూడా చూస్తారు. పైగా పసిబిడ్డకు నీళ్లు పోసే చేతులు.

ఇంట్లో పీకొద్దు. మీది అసిటోన్‌లో కరిగే జెల్ అయితే పైపొర ఫైల్ చేసి, అసిటోన్‌లో తడిపిన దూది, ఫాయిల్ చుట్టి పది పదిహేను నిమిషాలు ఉంచితే మెత్తబడుతుంది. కిటికీ తెరిచిన గదిలో, పొయ్యికీ అగరుబత్తికీ దోమల చుట్టకూ దూరంగా చేయాలి, అసిటోన్ ఇట్టే అంటుకుంటుంది. హార్డ్ జెల్ అయితే అసిటోన్‌కు లొంగదు, నిదానంగా అరగదీయాల్సిందే. అది గంట పని కావచ్చు. ఏ జెల్ పెట్టారో పార్లర్‌కు ఫోన్ చేసి అడిగి, ఈ వారంలోనే వెళ్లండి. నొప్పులు అర్ధరాత్రి మొదలైతే అప్పుడు ఏ పార్లరూ తెరిచి ఉండదు.