చిత్తూరు నాగయ్య

ఆంధ్రప్రదేశమునకు దక్షిణపు కొనయందు కుప్పమను పట్టణము కలదు. దానికి ఒక ప్రక్క తమిళనాడు, మరియొక ప్రక్క కర్ణాటకము. అచటి సంతలో నిలుచున్నచో తెలుగు, తమిళము, కన్నడము మూడును ఒక్కమారే చెవిని బడును. ద్రావిడ విశ్వవిద్యాలయము 1997లో ఆ పట్టణముననే నెలకొల్పబడుటకు ఈ భాషల కూడలియే కారణము. ఆ విశ్వవిద్యాలయము పుట్టుటకు ఎన్నో యేండ్లకు పూర్వము, కుప్పమున చదువుకొన్న బాలుడొకడు పెరిగి పెద్దవాడై, తెలుగు తమిళ దేశములు రెండింటను ప్రజలకు పూజ్యుడైన నటుడయ్యెను. ఆయనయే చిత్తూరు నాగయ్య.

నాగయ్య 1904వ సంవత్సరము మార్చి 28వ తేదీన రేపల్లెలో జన్మించెను. ఇంటిపేరు ఉప్పలదడియము. కుప్పమున చదువు సాగించిన పిమ్మట ఆయన చిత్తూరు చేరెను. అచట కొంతకాలము ప్రభుత్వ కార్యాలయమున గుమాస్తాగా పనిచేసెను. తరువాత ఆంధ్రపత్రికకు విలేఖరి యయ్యెను. గాంధీమహాత్ముని బోధలు, 1930 నాటి ఉప్పుసత్యాగ్రహము ఆయన హృదయమును కదలించినవి. అయినను ఆయన మనస్సును నిలువున దోచుకొన్నది మాత్రము నాటకరంగము.

ఆ దినములలో చిత్తూరున రామవిలాససభ యను నాటకసమాజము ఉండెను. నాగయ్యకు మధురమైన కంఠము, చక్కని రూపము కలవు. నాడు స్త్రీలు రంగస్థలమునకు వచ్చుట అరుదు. కావున స్త్రీపాత్రలను పురుషులే ధరించెడివారు. సారంగధర నాటకములో నాగయ్య చిత్రాంగి వేషము ధరించి మెప్పు పొందెను. రంగస్థలమున ఆయన పేరు చిత్తూరుతో కలిసిపోయెను. పుట్టినది రేపల్లెయైనను, ఇంటిపేరు వేరైనను, లోకము ఆయనను చిత్తూరు నాగయ్య యనియే పిలిచినది.

మొట్టమొదటి తెలుగు టాకీ చిత్రము భక్తప్రహ్లాద 1932లో వెలువడెను. దానికి దర్శకుడు హెచ్. ఎం. రెడ్డి. ఆ దర్శకుడే తరువాత రోహిణీ సంస్థవారి గృహలక్ష్మి చిత్రమును తీయుచు, నాగయ్యకు అందు ఒక సంస్కర్త పాత్రను ఒసంగెను. 1938లో వెలువడిన ఆ చిత్రముతో నాగయ్య చలనచిత్రసీమలో అడుగిడెను. కల్లు మానుమని ప్రబోధించుచు ఆయన అందు పాడిన పాట ఆంధ్రదేశమంతట మారుమ్రోగినది. అప్పటికి ఆయన వయస్సు ముప్పదినాలుగేండ్లు.

నాటకమునకును చలనచిత్రమునకును గల భేదమును ఇచట గ్రహింపవలెను. నాటకశాలలో చివరి వరుసన కూర్చున్న ప్రేక్షకునికి సైతము వినబడునట్లు నటుడు గొంతెత్తి పలుకవలెను. పద్యమును దీర్ఘముగా రాగము తీయవలెను. చేతులు విరివిగా కదల్పవలెను. చలనచిత్రమున కెమెరా నటుని ముఖమునకు చేరువగా నిలుచును. కనురెప్ప వాల్చినను అది తెరపై పెద్దదిగా కానవచ్చును. మైక్రోఫోను గుసగుసను సైతము పట్టుకొనును. నాటకరంగమునుండి వచ్చిన నటులు పెక్కురు ఈ భేదమును గుర్తింపక తెరమీద కూడ కేకలు పెట్టిరి. నాగయ్య మాత్రము గొంతు తగ్గించెను. ఇంటిలో మాటాడినట్లు మెల్లగా పలికెను. నేపథ్యగానము ఇంకను నెలకొనని ఆ దినములలో నటుడు తన పాట తానే పాడుకొనవలసియుండెను. నాగయ్య పాటకూడ మాటవలె సహజముగా సాగెడిది. తెలుగు చలనచిత్రాభినయమునకు ఆయన చూపిన క్రొత్తదారి ఇదియే.

రాయలసీమవాడైన బి. ఎన్. రెడ్డి వాహినీ సంస్థను స్థాపించి 1939లో వందేమాతరము అను చిత్రమును నిర్మించెను. అందు నాగయ్య నాయకుడు. ఆ మరుసటి సంవత్సరము వచ్చిన సుమంగళి చిత్రములో ఆయన వృద్ధుడైన సంఘసంస్కర్తగా నటించెను. వీరేశలింగము పంతులుగారిని తలపించు పాత్ర యది. ముప్పదియారేండ్లవాడు నెరసిన తలతో, వణకు గొంతుతో, అయినను చెదరని పట్టుదలతో తెరమీద కనబడినప్పుడు, ఆయన నడివయస్కుడన్న సంగతియే ప్రేక్షకులు మరచిపోయిరి.

1943లో వెలువడిన భక్తపోతన నాగయ్య జీవితమున ఒక మలుపు. కె. వి. రెడ్డి దర్శకత్వము వహించిన తొలిచిత్రమదియే. భాగవతమును తెలుగు చేసిన పోతన తన కావ్యమును రాజునకు అంకితము చేయనొల్లక, హలము పట్టి సేద్యము చేసికొని బ్రదికెనని మన పెద్దలు చెప్పుదురు. అట్టి మహాకవి పాత్రను ధరించుట సులభము కాదు. నాగయ్య ఆ పాత్రకు ఆర్భాటము కల్పింపలేదు. భక్తి యనగా కన్నులు మూసికొని చేతులు చాచుట కాదనియు, ఆశను జయించిన మనస్సు యొక్క నెమ్మదియే భక్తి యనియు ఆయన నటన చూపినది.

పిమ్మట 1946లో ఆయన త్యాగయ్య చిత్రమును స్వయముగా నిర్మించి, దర్శకత్వము వహించి, త్యాగరాజస్వామి పాత్రను తానే ధరించెను. తంజావూరు రాజు పంపిన కానుకలను త్యాగరాజు తిరస్కరించెనను కథ జగత్ప్రసిద్ధము. మరుసటి సంవత్సరమే యోగివేమన వెలువడినది. మదనపల్లెకు ఉత్తరమున కదిరి ప్రాంతములోని కటారుపల్లెలో వేమన సమాధి కలదు. కావున సీమ ప్రజలకు వేమన ఇంటివాడు. భోగములలో మునిగియున్న యువకుడు సర్వమును విడిచి యోగియై వెడలిపోవు పరిణామమును నాగయ్య క్రమక్రమముగా అభినయించెను.

ఈ మూడు పాత్రలను ప్రక్కప్రక్కన పెట్టి చూచినచో ఒక విషయము స్పష్టమగును. పోతన, త్యాగయ్య, వేమన ముగ్గురును ధనమును తృణప్రాయముగా ఎంచినవారు. ఆ పాత్రలను చూచిన జనులు నాగయ్యలోనే ఆ మహనీయులను దర్శించి చేతులు జోడించిరి. చరిత్రపురుషుల పాత్రలకు పెట్టినది పేరైన అమెరికా నటుడు పాల్ మునితో విమర్శకులు ఆయనను పోల్చి, భారతదేశపు పాల్ ముని యని కొనియాడిరి. లూయీ పాశ్చరుగా, ఎమిలీ జోలాగా తెరపై జీవించిన పాల్ మునికూడ నాటకరంగమునుండి వచ్చినవాడే.

తెలుగునాటనే కాక తమిళదేశమునను నాగయ్య కీర్తి వ్యాపించెను. 1941లో అశోక్‌కుమార్ అను తమిళ చిత్రములో ఆయన అశోకచక్రవర్తిగా నటించెను. 1945లో ఎం. ఎస్. సుబ్బులక్ష్మి మీరాబాయిగా నటించిన తమిళ మీరా చిత్రములో ఆయన రాణా పాత్రను ధరించెను. కుప్పము సీమలో చిన్ననాడు చెవినిబడిన తమిళము ఆయనకు ఇట్లు అక్కరకు వచ్చినది.

1950లో బీదలపాట్లు చిత్రము తెలుగున, అదియే ఏళై పడుమ్ పాడు అను పేర తమిళమున వెలువడెను. ఫ్రెంచి రచయిత విక్టర్ హ్యూగో 1862లో ప్రకటించిన నవల ఈ చిత్రములకు మూలము. ఆ నవలలో చెరనుండి వెలువడిన నాయకునికి ఒక మతాచార్యుడు ఆశ్రయమిచ్చును. ఆతడు ఆ యింటి వెండిపాత్రలనే దొంగిలించి పారిపోవును. రక్షకభటులు పట్టి తెచ్చినప్పుడు, ఆచార్యుడు ఆ పాత్రలు తానే ఇచ్చితినని చెప్పుటయే కాక, వెండి దీపస్తంభములను కూడ ఆతనికి ఇచ్చివేయును. ఒక్క దానము వలన మనుష్యుడే మారిపోవును. తాను నమ్మిన సత్యమునే ఆ కథలో చూచిన నాగయ్య, నాయకపాత్రను మనసార పోషించెను.

నిజజీవితమునను నాగయ్య ఇట్టి దాత. ఆయన ఇంటికి వచ్చినవారు భుజింపక మరలుట అరుదు. అడిగినవానికి లేదనుట ఆయన ఎరుగడు. చేతినిండ ధనము వచ్చుచున్న దినములలో ఎందరో ఆయనను ఆశ్రయించిరి. వచ్చినదెంత, పోయినదెంత యను లెక్క ఆయన వ్రాసికొనలేదు. చిత్రనిర్మాణమునకో లెక్క ప్రాణము. చిత్రము పూర్తియగుటలో ఆలస్యమైనకొలది అప్పుమీద వడ్డీ పెరుగును. విడుదలనాటికి లాభమంతయు దానికే చెల్లును. నాగయ్య 1953లో నిర్మించిన నా ఇల్లు ఆశించిన ధనమును తేలేదు. అయినను ఆయన రామదాసు చరిత్రను తెరకెక్కింప పూనుకొనెను. ధనము చాలక ఆ పని ఏండ్లతరబడి సాగి, తుదకు 1964లో ముగిసినది.

భద్రాచల రామదాసు కథ మనకందరకు తెలిసినదే. ఆయన సర్కారు పైకముతో రాముని కోయిల కట్టించి గోలకొండ చెరసాలలో మ్రగ్గెను. నాగయ్య వెచ్చించినది సర్కారు సొమ్ము కాదు, తన సొంత కష్టార్జితము. అయినను ఋణము ఆయనను చుట్టుముట్టెను. ఒకప్పుడు నాయకుడై వెలిగినవాడు బ్రతుకుతెరువునకై చిన్నపాత్రలను సైతము అంగీకరింపవలసివచ్చెను.

ఇచట ఆయన గొప్పతనము మరియొక రీతిగా వెల్లడియగును. పాత్ర చిన్నదైనను ఆయన నటన చిన్నది కాలేదు. 1957లో వచ్చిన పాండురంగ మాహాత్మ్యములో పుండరీకుని తండ్రిగా, 1963 నాటి లవకుశలో వాల్మీకిగా ఆయనను చూచినవారు మరువలేరు. కుమారునిచే నిరాదరింపబడిన వృద్ధుని వేదనను ఆయన ఒక్క చూపుతో తెలిపెను. తనకంటె ఎంతో చిన్నవారు నాయకులుగా వెలుగుచుండగా, ఆయన ఈర్ష్య లేక వారి ప్రక్కన తండ్రియై నిలిచెను. 1965లో భారతప్రభుత్వము ఆయనను పద్మశ్రీ బిరుదముతో గౌరవించినది.

బిరుదము గౌరవము తెచ్చినది గాని లేమిని తీర్చలేదు. నాగయ్య 1973 డిసెంబరు 30వ తేదీన మద్రాసులో కన్నుమూసెను. తరువాత ఆ నగరములోని త్యాగరాయనగరమున, పానగల్ పార్కుకడ ఆయన విగ్రహము ప్రతిష్ఠింపబడినది. మద్రాసునకు దూరదర్శన ప్రసారములు 1975లో వచ్చినవి. ఇంటనే చిత్రములు చూచు ఆ కాలమును ఆయన చూడలేదు. కాని నాటకశాలలో ఆయనను ఎన్నడును చూడని తరములవారు ఆయన పోతనను, త్యాగయ్యను తమ ఇండ్లలో కూర్చుండి చూచిరి.

నాగయ్య చరిత్ర చదివినవారికి ఒక సందేహము కలుగక మానదు. అంతగా దానము చేసి తుదకు లేమి ననుభవించుట వివేకమా? ఇంటిపెద్ద తన వారికొరకు కొంత దాచుకొనవలెను. లెక్క లేని దానము దాతనే కూల్చును. ఈ మాటలో సత్యము కలదు, దానిని త్రోసివేయరాదు. కాని తప్పంతయు దాతదే యనుట న్యాయము కాదు. ఆయన ఇంట భుజించినవారు, ఆయన చేతి సాయముతో పైకి వచ్చినవారు ఎందరో కదా! వారిలో పలువురు సకాలమున ఆదుకొనియున్నచో ఆయన కడపటి దినములు వేరుగా నుండెడివి. ఇచ్చువాడు లెక్క మరచినను, పుచ్చుకొన్నవాడు లెక్క మరువరాదు.

విగ్రహమునకు పూలమాల వేయుట సులభము. జీవించియున్న కళాకారుని యోగక్షేమములు విచారించుట కష్టము. మన ఊళ్లలో నేటికిని హరికథకులు, భాగవతులు, తోలుబొమ్మలాటవారు, వృద్ధులైన నాటకనటులు ఉన్నారు. వారి ఆట చూచి ఆనందించిన మనము వారి ఇంట పొయ్యి వెలుగుచున్నదో లేదో కనుగొనుట మన ధర్మము. చిత్తూరు నాగయ్య ఋణమును తీర్చుకొనుటకు మనకు మిగిలిన మార్గమదియే.