లక్క యింటినుండి ఏకచక్రపురమునకు

మహాభారతము ఆదిపర్వములోని లక్క యింటి కథ మనకు చిన్ననాటినుండి పరిచితమే. వారణావతమున పురోచనుడు లక్క, నేయి మొదలగు త్వరగా మండెడి వస్తువులతో గృహమును కట్టించుట, విదురుడు గూఢముగా హెచ్చరించుట, అతడు పంపిన మనుష్యుడు సొరంగము త్రవ్వుట, ఒకనాటి రాత్రి భీముడు ఇంటికి నిప్పంటించి తల్లిని, సోదరులను వెలికి గొనిపోవుట - ఇంతవరకు పిల్లలకు సైతము చెప్పుదుము. కాని ఆ రాత్రి ఆ యింటిలో మరియొక కుటుంబము కూడ ఉండెనను సంగతిని మాత్రము త్వరత్వరగా దాటిపోవుదుము. ఆనాడు కుంతీదేవి బ్రాహ్మణులకు సంతర్పణము చేసెను. అన్నమును ఆశించి ఒక నిషాద స్త్రీ తన అయిదుగురు కొడుకులతో అచటికి వచ్చెను. వారు తిని, త్రాగి, ఒడలు మరచి అచటనే నిద్రించిరి. తెల్లవారిన పిదప బూడిదలో ఆరు కళేబరములు కానవచ్చెను. పాండవులు తల్లితో గూడ దగ్ధులైరని పౌరులు విలపించిరి. దుర్యోధనుడు నమ్మెను. పాండవులు బ్రతికిరి.

వ్యాసమహర్షి ఈ సంగతిని దాచలేదు. కాలప్రేరితురాలై ఆమె వచ్చెనని చెప్పి ఊరకుండెను. ఆమె పేరును గాని, ఆమె కొడుకుల పేర్లను గాని చెప్పలేదు. ఆమె చేసిన అపరాధమేదియు లేదు. ఆకలిగొని వచ్చినది, అంతే. ఆమె అచట నుండుటచేతనే పాండవుల మరణవార్త లోకమునకు నమ్మదగినదయ్యెను. వారిని వెదకుటకు ఎవరును బయలుదేరకుండుటకు అదియే కారణమయ్యెను.

యుద్ధములలోను విప్లవములలోను ప్రాణములు దక్కించుకొన్నవారి కథలను విన్నపుడెల్ల ఈ నిషాద స్త్రీ జ్ఞప్తికి వచ్చుచుండును. తప్పించుకొన్నవాని ధైర్యమును మెచ్చుకొందుము, దైవకృపను కొనియాడుదుము. అతడు బ్రతుకుటకై ఎవరెవరు ఏమి ఇచ్చుకొనవలసివచ్చెనని అడుగము. ఈ ప్రశ్నను ముందిడుకొని, మన తెలుగువారికి మిగుల సన్నిహితమైన ఒక మహాపలాయనమును పరిశీలింతము. 1942వ సంవత్సరమున బర్మానుండి భారతీయులు కాలినడకన తరలివచ్చిన వృత్తాంతమది.

బర్మాలో తెలుగువారిని 'కోరంగీలు' అని పిలుచుచుండిరి. గోదావరి సముద్రమున కలియుచోటికి చేరువనున్న కోరంగి రేవునుండి పూర్వము ఓడలెక్కిపోయినవారగుటచే ఆ పేరు వచ్చినది. రేవు పూడిపోయినను పేరు నిలిచెను. 1931వ సంవత్సరపు జనాభా లెక్కల ప్రకారము బర్మాలో పదిలక్షలకు పైగా భారతీయులుండగా, వారిలో తెలుగువారు సుమారు లక్షా అరువది వేలమంది. రంగూను నగర జనములో సగమునకు మించి భారతీయులే. ఓడలకు సరకులెక్కించుట, దించుట, ధాన్యపు మిల్లులలో బస్తాలు మోయుట, రిక్షాలు లాగుట, వీధులు ఊడ్చుట మొదలగు పనులలో మనవారే ఎక్కువగా నుండిరి. వారిలో పలువురు కొన్ని సంవత్సరములు కష్టించి, నాలుగు రూకలు వెనుకవేసికొని, గంజాము, విశాఖపట్టణము, గోదావరి జిల్లాలలోని స్వగ్రామములకు మరలివచ్చు తలంపుతో పోయినవారే.

1941 డిసెంబరు 23వ తేదీ పగటివేళ జపానువారి విమానములు రంగూనుపై బాంబులు వైచెను. బాంబు అనగా నేమో యెరుగని జనులు వీధులలో నిలిచి, ఆకాశమున వరుసలు తీరి వచ్చుచున్న విమానములను వింతగా చూచుచుండిరి. రేవు ప్రాంతమున కూలీలు గుంపులు గుంపులుగా మడిసిరి. ఆ యొక్కనాడే వేయిమందికి పైగా మరణించిరి. మరి రెండు దినములకు, క్రిస్మసు పండుగనాడు, తిరిగి బాంబులు పడెను. పని విడిచి, కుండా చట్టీ నెత్తిన పెట్టుకొని వేలకొలది జనులు ప్రోము పట్టణపు దారి పట్టిరి. రేవులో సరకు దించువారు లేక ఓడలు నిలిచిపోయెను. అంతట అధికారులు వారిలో కొందరికి నచ్చజెప్పి వెనుకకు రప్పించిరి. ఈ సంగతి గమనింపదగినది. ఏ కూలీని నగరము అంతవరకు లెక్కకు కూడ తీసికొనలేదో, అతడు లేనిదే నగరము ఒక్కదినము నడువదని ఆనాడు తెలిసెను. అతడు మరలివచ్చి మూటలు మోసెను. 1942 మార్చి 8వ తేదీన జపాను సైన్యములు రంగూనులో ప్రవేశించునప్పటికి ఓడలలో చోటు సంపాదింపగలిగినవారు సముద్రము దాటిపోయిరి. తక్కినవారికి మిగిలినది నడక.

మూడు దారులుండెను. మొదటిది ప్రోము చెంత ఐరావతీనదిని దాటి, ఆరకాను కొండలమీదుగా టౌంగప్ చేరి, అచటినుండి పడవలలో అక్యాబునకును, పిదప చట్టగ్రామమునకును పోవునది. కొండదారి నూరు మైళ్లకు పైబడినది. వేసవి మొదలైనది, దారిలో నీరు కరవు, ఉన్న నీటిలో కలరా. లక్షకు మించిన జనము ఆ దారిన నడిచినదని అంచనా. రెండవది చింద్విన్ నదిని దాటి, తము మీదుగా మణిపురమునకు, అచటినుండి దిమాపూరు రైలుస్టేషనుకు పోవునది. మూడవది ఉత్తరమున హుకాంగ్ లోయగుండా పంగ్సావ్ కనుమ దాటి అస్సాములోని లేడో చేరునది. ఈ కడపటి దారి అన్నిటికంటె ఘోరము. మే నెలలో మిచ్చీనా విమానాశ్రయము పడిపోయిన పిదప, వేరు గతి లేనివారు ఈ దారి పట్టిరి. అప్పటికే వర్షములారంభమయ్యెను. మోకాలిలోతు బురద, జలగలు, మలేరియా, పొంగిన వాగులు. షింగ్బ్వియాంగ్ అను కొండగ్రామమున వానలు తగ్గువరకు నిలిచిపోవలసివచ్చినవారు అనేకులు. వారికై విమానములనుండి ఆహారపు మూటలు జారవిడిచిరి.

ఇట్లు నడిచినవారందరు కలిసి నాలుగైదు లక్షలుందురని చెప్పుదురు. దారిలో రాలిపోయినవారెందరో నిశ్చయముగా చెప్పినవారు లేరు. పదివేలని కొందరు, ఏబదివేలకు మించునని కొందరు. నిషాద స్త్రీ పేరు వ్రాయనట్లే వీరి పేర్లును ఎవరును వ్రాయలేదు.

ఇచట ఒక కఠినమైన విషయమును స్పృశింపక తప్పదు. లక్క యింటినుండి బయటపడిన రాత్రి తల్లి, సోదరులు నడువలేక సోలిపోగా భీముడు కొందరిని భుజములపై, కొందరిని చంకలలో ఎత్తుకొని వాయువేగమున నడిచెనని భారతము చెప్పుచున్నది. ఆ గుంపులో ఒక్కరును వెనుక పడలేదు. కాని ఆరకాను కొండలలో ప్రతి కుటుంబమునకు ఒక భీముడు లేడు. ముసలితల్లిని కొంతదూరము మోసి, ఇక మోయలేక చెట్టునీడను కూర్చుండబెట్టి, పిల్లలనైన దాటింతమని ముందునకు సాగినవారుండిరి. తల్లి మరణింపగా ప్రక్కనే మిగిలిపోయిన పసివారుండిరి. ఇట్టి కథలు విన్నపుడు, వారట్లు విడిచి రాదగునా యని, కడుపునిండ తిని, నీడపట్టున కూర్చుండి మనము తీర్పు చెప్పరాదు. ఆ కొండపైన ఆ దప్పితో నిలిచినవానికే ఆ ప్రశ్న నడుగుకొను అధికారము కలదు. అతడు దానిని జీవితాంతము అడుగుకొనుచునే యుండును.

మనము విచారింపదగిన ప్రశ్న వేరొకటి కలదు. ఆపదలో ఎంతవరకు తీసికొనవచ్చును? ఛాందోగ్యోపనిషత్తులో ఉషస్తి చాక్రాయణుని కథ దీనికి సమాధానము చూపును. కురుదేశమున పంటలు నాశమై కరవు వచ్చినపుడు ఆ విద్వాంసుడు భార్యతో ఏనుగుల కాపరుల గ్రామమున తలదాచుకొనెను. ఒకడు గుగ్గిళ్లు తినుచుండగా పోయి యాచించెను. తన ముందున్న ఎంగిలి గుగ్గిళ్లు తప్ప వేరు లేవని వాడనగా, వానినే ఇమ్మని తీసికొని తినెను. పిదప వాడు త్రాగుటకు నీరివ్వగా, ఎంగిలి నీరు వలదనెను. గుగ్గిళ్లు మాత్రము ఎంగిలి కావా యని వాడడిగెను. వానిని తినకున్న నేను బ్రతికియుండను, నీరు నాకు కోరినచోట లభించును అని ఉషస్తి యుత్తరము. బ్రతుకుటకు అవసరమైనది ఏదో, కేవలము తన యిచ్ఛకు, సౌఖ్యమునకు సంబంధించినది ఏదో, ఆ రెంటికి నడుమ ఆయన ఒక గీత గీసెను. ఆకలితో కన్నులు తిరుగుచున్న క్షణమున గీసెను. ఆపద్ధర్మమును గూర్చి పెద్దపెద్ద గ్రంథములు చెప్పినదంతయు ఈ గుగ్గిళ్ల కథలో ఇమిడియున్నదని తోచును.

ఈ గీతను బర్మా దారులలో చెరిపినవారుండిరి. మణిపురపు దారిలో తెల్లవారికి ఒక మార్గము, భారతీయులకు మరియొక మార్గము ఏర్పడినదనియు, నీడ, నీరు, వాహనములు గల వసతి మొదటివారికే లభించుచున్నదనియు ఫిర్యాదులు వచ్చెను. వైస్రాయి కార్యనిర్వాహకవర్గ సభ్యుడగు మాధవ శ్రీహరి ఆణేగారు, పండిత హృదయనాథ కుంజ్రూగారు ప్రభృతులు ఆ ప్రాంతములకు పోయి చూచి, వివక్ష జరిగిన మాట నిజమేయని ప్రకటించిరి. ప్రాణభయమున పరుగెత్తుట అందరికి సమానమే. కాని సౌఖ్యమును కూడ వెంట గొనిపోగోరి, దానికై ఇతరుల దారిని ఇరుకుచేయుట ఉషస్తి వలదన్న నీటిని త్రాగుట వంటిది.

అదే దారులలో ఇందుకు భిన్నమైనదియు కానవచ్చెను. అస్సాము తేయాకు తోటల సంఘము తన తోటలనుండి వేలకొలది కూలీలను కొండలలోనికి పంపెను. వారు అడవి నరికి దారులు చేసిరి, వెదురు పాకలు వేసిరి, బియ్యపు మూటలు మోసిరి, నడువలేనివారిని డోలీలలో దించిరి. ఈ కూలీలును తమ స్వస్థలములు విడిచి పొట్టకూటికై ఎచ్చటనుండియో వచ్చినవారే. శరణార్థులనుండి సోకిన కలరా వారిని విడువలేదు. దఫా నది యొడ్డున జరిగిన సంగతి కొంత ప్రసిద్ధమైనది. జూన్ నెలలో చౌకాన్ కనుమగుండ వచ్చిన 68 మంది సైనికులు ఆ నదిలోని ఒక లంకపై చిక్కుకొనిరి. చుట్టును వరద. జైల్స్ మాక్రెల్ అను తేయాకు వ్యాపారోద్యోగి ఏనుగులతో అచటికి చేరెను. పగలంతయు ఏనుగులు ప్రవాహమునకు వెరచి దాటలేకపోయెను. రాత్రి నీరు కొంత తీయగా, తెల్లవారుజామున మావటీలు ఏనుగులను నడిపి వారిని ఒడ్డు చేర్చిరి. మాక్రెల్‌కు ప్రభుత్వము పతకమిచ్చెను, అది న్యాయమే. కాని చీకటిలో, వరదలో, ఏనుగు మెడపై కూర్చుండి ముందుగా నీటిలోనికి దిగిన మావటీల పేర్లు మనలో ఎందరికి తెలియును?

రంగూనునుండి నడిచివచ్చినవారిలో ఒక యువసన్న్యాసి కూడ ఉండెను. 1939 మొదలు 1942 వరకు అచటి రామకృష్ణ మిషను శాఖలో కార్యదర్శిగాను, గ్రంథాలయాధ్యక్షుడుగాను పనిచేసిన స్వామి రంగనాథానందులు శరణార్థులతో కలిసి కాలినడకన బయలుదేరి ఢాకా చేరిరి. అనంతరము కరాచీ ఆశ్రమ బాధ్యతను వహించిరి. 1998లో మిషనుకు పదుమూడవ అధ్యక్షులైరి. వారి వేదాంతోపన్యాసములను విన్నవారు దేశమంతట నున్నారు. ఆ వాక్కు వెనుక ఈ నడక కూడ నున్నదని గుర్తుంచుకొన్నవారు తక్కువ.

ఇల్లు చేరిన తెలుగువారి మాట యేమి? ఏప్రిల్ 6వ తేదీన విశాఖపట్టణముపైనను, కాకినాడపైనను బాంబులు పడెను. పట్టణవాసులు మూటలు కట్టుకొని పల్లెలకు పరుగిడుచుండగా, అంతకుమున్నే ఆ రెండు రేవుల ప్రాంతములకు మరలివచ్చిన రంగూను కూలీలు ఆ ధ్వనిని రెండవసారి వినిరి. బర్మాలో తాము కూడబెట్టినది అచటనే పోయినది. చేతిలో మిగిలినది ప్రాణమొక్కటే. అది యెవరెవరి చేతులమీదుగా తమవరకు వచ్చెనో వారికే స్పష్టముగా తెలియదు: నీరిచ్చిన కొండజాతి ముసలిది, పడవలో చోటిచ్చిన సరంగు, బియ్యపు గంజి పోసిన తోటకూలీ. వారిని వెదకి ఋణము తీర్చుట సాధ్యము కాదు. వారిలో పలువురు బ్రతికియే యుండకపోవచ్చును.

ఇక మరల భారతమునకు వత్తము. లక్క యింటినుండి బయటపడిన పాండవులు ఏకచక్రపురమున ఒక బ్రాహ్మణుని యింట భిక్షాన్నముతో కాలము గడపుచుండిరి. ఒకనాడు ఆ యింటినుండి ఏడ్పు వినబడెను. బకాసురునకు ఆహారముగా పోవలసిన వంతు ఆ యింటికి వచ్చెను. నేను పోయెదనని తండ్రి, నేననుచు తల్లి, నేననుచు కూతురు. వారి పసిబాలుడు ఒక గడ్డిపరకను చేతబట్టి, దీనితో రాక్షసుని చంపెదనని వచ్చీరాని మాటలతో అనుచుండెను. కుంతి లోనికి పోయి, నీకు ఒక్కడే కుమారుడు, నాకు అయిదుగురున్నారు, నాలో ఒకనిని పంపెదనని చెప్పెను. ధర్మరాజు ఈ సంగతి విని తల్లిని కోపించెను. ఎవని భుజబలముచే మనమింతవరకు బ్రతికితిమో, వానినే రాక్షసుని నోటికి పంపెదవా, నీకు మతి తప్పినదా యనెను. ఆశ్రయమిచ్చినవారికి ప్రత్యుపకారము చేయుట ధర్మమని ఆమె యుత్తరమిచ్చెను.

మూలములో చెప్పిన కారణమింతే. కాని చదువరులు ఒక్కమారు లెక్క చూచుకొందురు గాక. అయిదుగురు కొడుకుల తల్లి యొకతె కుంతి యింట అన్నము తిని, ఆమె బిడ్డలకు మారుగా తన బిడ్డలతో కాలిపోయెను. అయిదుగురు కొడుకుల తల్లియగు కుంతి ఇప్పుడు పరుల యింట నుండి, పరుల బిడ్డకు మారుగా తన బిడ్డను పంపుచున్నది. నిషాద స్త్రీ ఎరుగక ఇచ్చినదానిని కుంతి ఎరిగి ఇచ్చుచున్నది. ఆమెకు ఆ రాత్రి జ్ఞప్తికి వచ్చెనో లేదో వ్యాసుడు చెప్పలేదు. ఈ రెండు కథలను అంత దగ్గరగా నిలిపి ఊరకుండెను.

భీముడు బండెడు అన్నముతో పోయి బకుని వధించి వచ్చెను. ఈ సంగతిని ఎవరికిని తెలుపరాదని కుంతి ముందుగనే ఆ బ్రాహ్మణునివద్ద మాట తీసికొనియుండెను. మరునాడు పౌరులు గుమిగూడి, ఎవరు మనలను రక్షించిరని అడిగిరి. ఎవరో మంత్రసిద్ధుడైన బ్రాహ్మణుడు తన దుఃఖమును చూచి జాలిగొని పోయెనని మాత్రము అతడు చెప్పెను. ఏకచక్రపురవాసులకు తమ ప్రాణదాత పేరు తెలియలేదు.