పాత ఎక్స్‌పీని కొత్త కంప్యూటర్‌లోకి మార్చడం ఎలా?

ఈ వార్షికోత్సవ సంచిక పని మొదలుపెట్టగానే మాకు పాత సంచికలు కావలసివచ్చాయి. అవన్నీ మన హాస్టల్ పాత కంప్యూటర్‌లో పేజ్‌మేకర్ ఫైళ్ళుగా ఉన్నాయి. దాని మదర్‌బోర్డు మీద కెపాసిటర్లు ఉబ్బిపోయి, అరగంటకోసారి ఆగిపోతోంది.

ఫైళ్ళు పెన్‌డ్రైవ్‌లో తెచ్చుకుంటే సరిపోదా అని మీరు అడగవచ్చు. సరిపోదు తమ్ముళ్ళూ. అప్పటి మన తెలుగు ఫాంట్లు యూనికోడ్‌వి కావు. ఆ ఫాంటు లేకపోతే అన్నలు రాసిన కవితలు ఇంగ్లీషు అక్షరాలు, గుర్తుల కలగాపులగంగా కనిపిస్తాయి. ఫాంట్లు కాపీ చేసుకున్నా పేజ్‌మేకర్ కావాలి, దాని సీడీ ఎప్పుడో పోయింది. కనుక విండోస్ ఎక్స్‌పీని ఉన్నది ఉన్నట్టుగా హార్డ్ డిస్కుతో సహా తీసుకెళ్ళాలి.

మా ఇళ్ళలో డిగ్రీ చదివింది మేమే మొదలు. కంప్యూటర్ విప్పడమూ ఈ హాస్టల్‌లోనే నేర్చాం, కాస్త తొందర ఎక్కువ. డిస్కు తీసి, ఒక పూర్వ విద్యార్థి ఇచ్చిన కంప్యూటర్‌కు తగిలించాం. ఎక్స్‌పీ బొమ్మ ఒక్క క్షణం కనిపించి నీలి తెర వచ్చింది, 7బి అనే సంఖ్యతో. డిస్కే పోయిందనుకుని ఆ రాత్రి మెస్‌లో ఎవరమూ సరిగా తినలేదు.

డిస్కు పోలేదు. విండోస్ లేచేటప్పుడు డిస్కును చదవాలంటే బోర్డు మీది కంట్రోలర్‌కు తగిన డ్రైవర్ కావాలి. ఎక్స్‌పీ దగ్గర పాత బోర్డు డ్రైవరే ఉంది. కొత్తది వేద్దామంటే డిస్కే తెరుచుకోదు. తాళంచెవిని లోపల పెట్టి తలుపు వేసుకున్నట్టు.

ముందుగా డిస్కు మొత్తం కాపీ తీశాం (మొదటే చేయవలసిన పని). తర్వాత దాన్ని పాత బోర్డుకే తగిలించి, డివైస్ మేనేజర్‌లో ఐడీఈ కంట్రోలర్ డ్రైవర్‌ను ‘స్టాండర్డ్ డ్యూయల్ చానల్ పీసీఐ ఐడీఈ కంట్రోలర్’గా మార్చాం. ఇది ఏ ఒక్క కంపెనీ బోర్డుకో కాక, చాలా బోర్డులకు సరిపోయే సాధారణ డ్రైవర్. మార్చగానే రీస్టార్ట్ చేయమంటుంది, చేయకూడదు. షట్‌డౌన్ చేసి డిస్కు తీసేయాలి. పాత బోర్డు మీద మళ్ళీ లేస్తే పాత డ్రైవరే తిరిగి వేసుకోవచ్చు. కొత్త కంప్యూటర్ బయోస్‌లో సాటా మోడ్‌ను ఏహెచ్‌సీఐ నుండి ఐడీఈకి మార్చాం. 2001లో వచ్చిన ఎక్స్‌పీలో ఏహెచ్‌సీఐ డ్రైవర్ లేదు. ఇప్పటి కొత్త బోర్డుల్లో ఈ ఐడీఈ వీలు ఉండదు. మాకు వచ్చిన కంప్యూటర్ కూడా కొంత పాతదే కావడం మా అదృష్టం.

ఈసారి లేచింది. హార్డ్‌వేర్ చాలా మారినందున మళ్ళీ యాక్టివేషన్ అడిగి, మూడు రోజులు గడువిచ్చింది. (కంప్యూటర్‌తోపాటు వచ్చిన విండోస్ అయితే దాని లైసెన్సు ఆ కంప్యూటర్‌కే. మాది విడిగా కొన్నది.) 2014 ఏప్రిల్ 8తో ఎక్స్‌పీకి మైక్రోసాఫ్ట్ మద్దతు ఆగిపోయింది కనుక నెట్ తగిలించలేదు. మూడు రోజులూ వంతులవారీగా కూర్చుని ప్రతి సంచికనూ తెరిచి ప్రింటు తీశాం.

2006 సంచిక ఫైలు మాత్రం తెరుచుకోలేదు. ఆ పుస్తకం ఏ అన్న దగ్గరైనా ఉంటే హాస్టల్‌కు పంపగలరు. జిరాక్స్ తీసుకుని తిరిగి ఇచ్చేస్తాం.