నల్లపిల్లి చేసిన నేరమేమిటి?

"పిల్లి ఎదురొచ్చింది, కాసేపు కూర్చుని మంచినీళ్ళు తాగి వెళ్ళు" అనే మాట చెవిని పడకుండా పెరిగిన తెలుగువాళ్ళు బహు తక్కువ. మన వూళ్ళలో పిల్లి ఎదురొస్తే దాని రంగేమిటని ఎవరూ అడగరు. తెల్లదైనా, చారలదైనా, నల్లదైనా శకునం ఒకటే. పాశ్చాత్య దేశాల్లో మాత్రం ఆ నింద ప్రత్యేకించి నల్లపిల్లి నెత్తిన పడింది. అది మాటతో పోయే నింద అయితే దాన్ని గురించి వ్యాసం రాయనక్కరలేదు. అక్కడి జంతు శరణాలయాల్లో నల్లపిల్లుల్ని పెంచుకోవటానికి జనం ముందుకు రారనీ, అందువల్ల వాటి ప్రాణం మీదికి వస్తున్నదనీ చాలాకాలంగా చెప్పుకుంటున్నారు. ఇది ఎంతవరకు నిజం? నిజమైతే కారణమేమిటి? జంతుశాస్త్రం చదువుకుంటున్న విద్యార్థిగా ఈ రెండు ప్రశ్నలకూ జవాబు వెతకటానికి చేసిన చిన్న ప్రయత్నమే ఈ వ్యాసం.

శరణాలయం అంటే ఏమిటి?

మనకు పిల్లి అంటే ఇంటికీ వీధికీ మధ్య తిరిగే జీవి. పాలు పోసిన ఇల్లే దాని ఇల్లు. అమెరికా, ఇంగ్లండు వంటి దేశాల్లో అలా కాదు. వీధిలో దొరికినవీ, యజమానులు వద్దనుకున్నవీ శరణాలయానికి చేరతాయి. అక్కడ వాటికి టీకాలు వేసి, గదుల్లోనో బోనుల్లోనో వుంచుతారు. కావలసినవాళ్ళు వచ్చి, చూసి, కాగితం మీద సంతకం పెట్టి, కొంత రుసుము కట్టి ఇంటికి తీసుకుపోతారు. దీన్నే దత్తత అంటారు.

చిక్కంతా చోటు దగ్గరే వస్తుంది. వచ్చేవి ఎక్కువ, పోయేవి తక్కువ. చోటు చాలనప్పుడూ, జబ్బు చేసినప్పుడూ మిగిలినవాటికి సూదిమందు ఇచ్చి నొప్పి తెలియకుండా చంపే పద్ధతి చాలాచోట్ల వుంది. 2019 నాటి ఒక అంచనా ప్రకారం అమెరికాలో ఏడాదికి సుమారు 32 లక్షల పిల్లులు శరణాలయాలకు వచ్చేవి, 5 లక్షల 30 వేల పిల్లుల్ని చంపేవారు. అంతకుముందు దశాబ్దాలతో పోలిస్తే ఇది బాగా తగ్గిన సంఖ్యే. అయినా ఒక పిల్లిని ఎవరైనా ఎంచుకున్నారా లేదా అనేది అక్కడ చావుబతుకుల ప్రశ్న అని దీన్నిబట్టి తెలుస్తుంది.

నలుపు ఎలా వస్తుంది?

చారల పిల్లి వెంట్రుక ఒకదాన్ని పట్టుకుని వెలుతురులో చూస్తే, అందులో నలుపూ పసుపూ పట్టీలు పట్టీలుగా కనిపిస్తాయి. వెంట్రుక పెరుగుతుండగా నల్లరంగు తయారీని మధ్య మధ్య ఆపే ప్రోటీను ఒకటుంది. దాన్ని తయారుచేసే జన్యువుకు అగౌటి అని పేరు. పెంపుడు పిల్లుల్లో ఈ జన్యువులో కేవలం రెండు అక్షరాలు, అంటే రెండు క్షారాల జతలు, లోపించటం వల్ల ఆ ప్రోటీను పనిచెయ్యకుండా పోతుందని 2003లో శాస్త్రజ్ఞులు కనిపెట్టారు. ఆపేవాడు లేడు గనక వెంట్రుక మొదలునుంచి చివరిదాకా నల్లగానే పెరుగుతుంది. నల్లపిల్లి రహస్యం ఇంతే. ఇందులో దయ్యమూ లేదు, మంత్రమూ లేదు.

ఇది అంతర్గత లక్షణం. తల్లినుంచి ఒకటి, తండ్రినుంచి ఒకటి, రెండు ప్రతులూ లోపించినవి అయితేనే పిల్ల నల్లగా పుడుతుంది. అందుకే చారల తల్లిదండ్రులకు కూడా నల్లపిల్ల పుట్టవచ్చు. అయితే అంతర్గత లక్షణం అంటే అరుదైన లక్షణం అనుకునే పొరపాటు మనలో చాలామందికి వుంది. ఒకచోటి పిల్లుల్లో ఈ జన్యువు ప్రతులు నూటికి 70 లోపించినవే అనుకుందాం. హార్డీ - వైన్‌బర్గ్ సూత్రం ప్రకారం 0.7 ను 0.7 తో హెచ్చిస్తే 0.49. అంటే, నారింజరంగు, తెలుపు జన్యువులు అడ్డురాకపోతే, దాదాపు సగం పిల్లులు నల్లవే అవుతాయి! జాతి చూసి పెంచనివీ, తమంతట తాము ఈనినవీ అయిన మామూలు పిల్లుల్లో నలుపు చాలా సాధారణం. ఈ సంగతి గుర్తుంచుకోవాలి. తరవాతి లెక్క అంతా దీనిమీదే ఆధారపడి వుంది.

లెక్క ఎక్కడ తప్పుతున్నది?

ఒక శరణాలయానికి 100 పిల్లులు వచ్చాయనుకుందాం. వాటిలో 40 నల్లవి. మిగతా 60 నాలుగు రంగులవి, రంగుకు 15 చొప్పున. వచ్చిన జనానికి రంగు పట్టింపు లేనేలేదు. ప్రతి రంగులోనూ నూటికి 60 చొప్పున తీసుకుపోయారు. ఇప్పుడు మిగిలినవి ఎన్ని? నల్లవి 16. మిగతా రంగులు ఒక్కొక్కటి 6. మర్నాడు లోపలికి వచ్చినవాడికి ఎటు చూసినా నల్లపిల్లులే కనిపిస్తాయి. "పాపం, నల్లవాటిని ఎవరూ తీసుకోలేదు" అంటాడు. నిజానికి ఆ శరణాలయంలో ఏ పక్షపాతమూ జరగలేదు! మిగిలినవాటి సంఖ్య చూడటం వేరు, వచ్చినవాటిలో మిగిలినవి నూటికెన్ని అని చూడటం వేరు.

ఇది నేను వూహించి వేసిన లెక్క. అసలు లెక్కలు కూడా వున్నాయి. అమెరికాలో 1866లో స్థాపించిన ఏ.ఎస్.పి.సి.ఏ. అనే జంతు సంరక్షణ సంస్థ 2013లో 14 ప్రాంతాల వివరాలు పరిశీలించింది. శరణాలయాలకు వచ్చిన పిల్లుల్లో నల్లవి నూటికి 33. దత్తతకు పోయినవాటిలో నల్లవి నూటికి 31. చంపబడినవాటిలో నల్లవి నూటికి 30. అంటే చంపబడినవాటిలో నల్లవే ఎక్కువ అనే మాట ఎంత నిజమో, దత్తతకు పోయినవాటిలో నల్లవే ఎక్కువ అనే మాట కూడా అంతే నిజం. మొదటిమాట మాత్రమే లోకంలో ప్రచారమైంది.

అలాగని నల్లపిల్లి కష్టం వట్టి కట్టుకథ అని తోసెయ్యటానికీ వీల్లేదు. కెంటకీ రాష్ట్రంలోని లూయీవిల్ నగర శరణాలయంలో సుమారు 8,000 పిల్లుల వివరాలు తీసుకుని చేసిన పరిశోధన 2020లో అచ్చయింది. అక్కడ నల్లపిల్లుల దత్తత మిగతావాటికంటే కొంత తక్కువ, మరణాలు కొంత ఎక్కువ. తేడా పెద్దది కాదు, కానీ వుంది. నల్లపిల్లి దత్తతకు మిగతావాటికంటే ఎక్కువ రోజులు పడుతుందని కొలరాడోలో జరిగిన మరో పరిశోధన చెప్పింది. బోనులో రోజులు పెరిగేకొద్దీ జలుబు వంటి అంటువ్యాధులు సోకే ప్రమాదమూ పెరుగుతుంది. దిగులుపడ్డ జంతువు మూలకు నక్కుతుంది. నక్కినదాన్ని ఎవరూ ఎంచుకోరు. నూటికి ఒకటి రెండు అనేది కాగితం మీద చిన్న అంకె. లక్షల మీద వేసి చూస్తే అవే వేల ప్రాణాలు.

కంటికి ఆనకపోవటం

ఆ కొద్దిపాటి తేడాకు కారణాల్లో ఒకటి భౌతికశాస్త్రానిది. నల్లని వెంట్రుక తన మీద పడిన వెలుతురులో చాలాభాగం పీల్చుకుంటుంది. బోను వెనక మసక వెలుతురులో ముడుచుకు పడుకున్న నల్లపిల్లి, చూసేవాడి కంటికి ఒక నీడలాగే వుంటుంది. ముక్కు ఎక్కడ, మూతి ఎక్కడ, మీసం ఎటు వంగింది అన్నది తెలియదు. మనిషి ఏ ప్రాణిని చూసినా ముందు ముఖం వెతుకుతాడు. ముఖం దొరక్కపోతే మనసు నిలవదు. పక్క బోనులోని చారల పిల్ల దగ్గరికి పోతాడు.

ఫోటోల సంగతి మరీ అన్యాయం. ఈనాడు ఎక్కువమంది ముందు ఫోటో చూసే శరణాలయానికి వస్తున్నారు. కెమెరా తన ముందున్న దృశ్యంలోని వెలుతురును సగటు కట్టుకుంటుంది. వెనక తెల్లగోడ వుంటే, ఆ తెలుపుకు తగ్గట్టు వెలుతురును తగ్గిస్తుంది. దాంతో పిల్లి రెండు కళ్ళున్న బొగ్గుముద్ద అవుతుంది. ఒకే ఈతలో పుట్టిన నాలుగు నల్లపిల్లలుంటే ఏది ఏదో తేల్చుకోవటం మరీ కష్టం.

నమ్మకం సంగతి

రెండో కారణం నమ్మకం. 1233లో పోప్ తొమ్మిదవ గ్రెగరీ జర్మనీకి రాసిన ఒక లేఖలో, మతద్రోహుల రహస్య పూజల్లో నల్లపిల్లి కనిపిస్తుందనే వర్ణన వుంది. అందులో పిల్లుల్ని చంపమన్న ఆజ్ఞ లేదు గాని, నలుపుకూ పిల్లికీ సైతానుకూ ముడి పడింది. తరవాతి శతాబ్దాల్లో మంత్రగత్తెలనే నెపంతో స్త్రీలను ఉరితీసిన కాలంలో ఆ ముడి ఇంకా బిగిసింది. ఇక్కడ ఒక వింత చూడండి. 1566లో ఇంగ్లండులోని చెమ్స్‌ఫర్డులో జరిగిన పేరుమోసిన విచారణలో సైతాను అని చెప్పబడిన పిల్లి నల్లది కాదు, మచ్చలున్న తెల్లపిల్లి! చరిత్రలో తెల్లపిల్లి మీద కూడా నేరం మోపారు. లోకం మాత్రం నల్లదాన్నే గుర్తుపెట్టుకుంది. అదే ఇంగ్లండులో చాలామందికి నల్లపిల్లి ఎదురొస్తే అదృష్టం. జపానులోనూ అది శుభమే. ఒకే జంతువు ఒకచోట శుభం, మరొకచోట అశుభం అయితే, ఆ గుణం జంతువులో వున్నదా, చూసేవాడి తలలో వున్నదా?

2020లో ప్రచురితమైన ఒక అమెరికన్ పరిశోధనలో పిల్లుల ఫోటోలు చూపి జనం అభిప్రాయం అడిగారు. మూఢనమ్మకాలు ఎక్కువ వున్నవాళ్ళలోనూ, నల్లపిల్లి ముఖంలో భావం పోల్చుకోలేమన్నవాళ్ళలోనూ దానిపట్ల విముఖత ఎక్కువగా కనిపించింది. అంటే నమ్మకమూ, కంటికి ఆనకపోవటమూ రెండూ కలిసే పనిచేస్తున్నాయి.

మనం వాళ్ళను చూసి నవ్వనక్కరలేదు. మాది వ్యవసాయ కుటుంబం. ఎడ్ల సంతలో పళ్ళు పట్టి చూడకముందే వొంటిమీద సుడులు వెతికేవాళ్ళను నేను చూశాను. సుడి వుండకూడని చోట వుంటే ఎంత చక్కగా దున్నే ఎద్దుకైనా ధర పడిపోతుంది. ఆ పక్కనే గేదెల దగ్గరకు వస్తే నలుపే అందం. నిగనిగలాడే ముర్రా గేదె చుట్టూ జనం మూగుతారు. పాలు కావాలి గనక అక్కడ నలుపు అపశకునం కాలేదు.

మా ఇంట్లో ధాన్యం పురి దగ్గర తిరిగే పిల్లి నల్లదే. మా అమ్మ దాన్ని రంగుతో కాక, పట్టిన ఎలుకలతో లెక్కవేస్తుంది. పొద్దున్నే పొలానికి బయలుదేరే నాన్నకు అది రోజూ ఎదురొస్తుంది. పంట పోయిన ఏడూ ఎదురొచ్చింది, పండిన ఏడూ ఎదురొచ్చింది. శకునాన్ని పరీక్షించటానికి ఇంతకు మించిన ప్రయోగశాల అక్కరలేదు.

ఏం చెయ్యవచ్చు?

కారణం తెలిస్తే మందు దొరుకుతుంది. నమ్మకం మార్చటానికి తరాలు పడుతుంది గాని, వెలుతురు మార్చటానికి ఒక్క నిమిషం చాలు. నల్లపిల్లిని కిటికీ పక్కన, వెలుతురు ఏటవాలుగా పడేచోట కూర్చోబెట్టి, వెనక మధ్యస్థమైన రంగు గుడ్డ కట్టి ఫోటో తీస్తే ముఖం కనబడుతుంది. వెలుతురు పడే ముందువరస బోనులో పెట్టటం, మెడకు రంగుపట్టీ కట్టటం, తలా ఒక పేరు పెట్టి గుణగణాలు రాసి తగిలించటం కూడా ఖర్చు లేని పనులే. 1927లో ఏర్పడిన ఇంగ్లండులోని క్యాట్స్ ప్రొటెక్షన్ సంస్థ 2011 నుంచి అక్టోబరు 27న నల్లపిల్లుల దినం జరుపుతున్నది. అన్నిటికంటే ముఖ్యం పిల్లులకు పిల్లలు పుట్టకుండా శస్త్రచికిత్స చేయించటం. వచ్చే పిల్లులే తగ్గితే, ఎవరిని వుంచాలి, ఎవరిని చంపాలి అనే ప్రశ్న ఏ రంగుకూ రాదు.

మిత్రులారా, ఈ విషయంలో రెండు రకాల తొందరపాటు వుంది. పిల్లిని చూసి కీడు అనుకోవటం ఒకటి. మిగిలిన పిల్లుల్ని చూసి, వచ్చినవెన్నో అడగకుండా తీర్పు చెప్పటం రెండోది. మొదటిదాన్ని మూఢనమ్మకం అంటాం. రెండోదాన్ని జాలి అంటాం. రెండూ లెక్క చూడనివే. లెక్క చూసినవాడికి నల్లపిల్లి కష్టం విన్నంత పెద్దది కాదనీ తెలుస్తుంది, కొట్టిపారేసేంత చిన్నది కాదనీ తెలుస్తుంది. అంతేకాదు, ఆ కష్టంలో సగం కాసింత వెలుతురుతో తీరేదని కూడా తెలుస్తుంది.