ఇల్లు వదలకు, అమ్మలూ

ఫిల్మ్ నగర్, హైదరాబాద్

అమ్మలూ,

నీ నాటికను సినిమాగా తీస్తామని ఒక నిర్మాత ముందుకొచ్చాడని మీ నాన్న ఫోన్‌లో చెప్పాడు. చాలా సంతోషించాను. సిట్టింగులో వాళ్ళు "అంతా ఒకే ఇంట్లో నడుస్తోంది, డ్రామాలా ఉంది, కథని కాస్త బయటికి తీసుకెళ్ళండి" అన్నారట. నువ్వు అందులోని అల్లుడికి విశాఖలో ఉద్యోగం ఇప్పించి, ఊటీలో ఓ పెళ్ళి పెట్టి తిరగరాస్తున్నావట. ఆ మాట విన్నాక ఊరుకోలేక రాస్తున్నాను. రెండో వెర్షన్ వాళ్ళకి పంపకముందే ఇది చదువు.

జూబ్లీహిల్స్‌లో ఏ సినిమా ఆఫీసుకి వెళ్ళి ఇంటి కథ చెప్పినా ఈ మాటే వస్తుంది. వాళ్ళని తప్పు పట్టను. టికెట్టు కొన్నవాడు రెండున్నర గంటలు నాలుగు గోడలే చూస్తే విసుగెత్తిపోతాడేమోనని భయం. డబ్బు పెట్టేవాళ్ళకి ఆ భయం ఉండాలి కూడా. కానీ నువ్వు రచయిత్రివి. ఇంటి హాస్యం దేనిమీద నిలబడుతుందో నీకు తెలియాలి. పడనివాళ్ళు ఒకే కప్పు కింద ఇరుక్కుపోయి, కదల్లేకపోవడం మీద. పోవడానికి దారి ఉంటే పోతారు, ఇక నవ్వేముంది? నీ నాటికలో ఆ మామా అల్లుడూ వాటా ఖాళీ చేయలేకపోవడానికి నువ్వు పెట్టిన కారణమే కథకి ప్రాణం. అల్లుడికి విశాఖ టికెట్టు కొనిచ్చిన క్షణాన అది పోయింది.

'మిస్సమ్మ' మళ్ళీ చూడు. 1955 జనవరిలో విడుదలైంది. దాని మూలం బెంగాలీ నాటకం, రవీంద్రనాథ్ మైత్ర రాసిన 'మన్మొయీ గర్ల్స్ స్కూల్'. దాన్ని తెలుగులోకి తెచ్చిన చక్రపాణిగారికి బెంగాలీ క్షుణ్ణంగా వచ్చు, శరత్ నవలల్ని తెలుగు చేసిన చెయ్యి అది. భార్యాభర్తలైన టీచర్లే కావాలన్న ప్రకటన చూసి, ఒకరికొకరు ఏమీ కాని ఒక యువకుడు, మేరీ అనే అమ్మాయి దంపతులమని చెప్పుకుని జమీందారుగారి ఊళ్ళో దిగుతారు. ఆమె తీర్చాల్సిన అప్పుంది, అప్పిచ్చిన డేవిడ్ ఆమెను పెళ్ళాడాలని కాచుకుని ఉన్నాడు. జీతం కావాలంటే జమీందారు ఇచ్చిన ఇంట్లో ఉండాలి, ఉండాలంటే అబద్ధం ఆడుతూనే ఉండాలి. పైగా జమీందారు దంపతులు చెడ్డవాళ్ళయితే మోసం చేయడం తేలికయ్యేది. వాళ్ళు మేరీని కన్నకూతురిలా చూసుకుంటారు. వాళ్ళ ప్రేమ పెరిగిన కొద్దీ అబద్ధం మోయలేని బరువవుతుంది. దర్శకుడు ఎల్.వి. ప్రసాద్‌గారు ఈ ఇరుకుని ఒక్క రీలులో కూడా సడలనివ్వలేదు.

అంతా ఇంట్లోనే అయితే మరి కెమెరా ఎందుకు అంటావు. ఇంగ్లండులో 1954లో వచ్చిన 'హాబ్సన్స్ చాయిస్' సంపాదించి చూడు. హెరాల్డ్ బ్రిగ్‌హౌస్ నాటకం, డేవిడ్ లీన్ దర్శకత్వం. బెర్లిన్ ఉత్సవంలో గోల్డెన్ బేర్ గెలుచుకుంది. సాల్ఫర్డ్‌లో చెప్పుల దుకాణం పెట్టుకున్న తాగుబోతు తండ్రి, ముగ్గురు కూతుళ్ళు. పెద్దదానికి ముప్ఫై ఏళ్ళు, నీకిక పెళ్ళేమిటని తండ్రి తీసిపారేస్తాడు. ఆ పిల్ల కింద నేలమాళిగలో చెప్పులు కుట్టే కుర్రాణ్ణి పిలిచి, నిన్నే చేసుకుంటానంటుంది. అందులో తండ్రి తప్పతాగి, వీధి గుంటల్లోని నీళ్ళలో కనిపించే చంద్రుడి వెంట పడి, చివరికి ఎవరిదో గోదాములో పడిపోతాడు. నాటకంలో ఆ పడిపోవడం మాటల్లో వినిపిస్తుందంతే. లీన్ దాన్ని వీధిలోకి తెచ్చి, ఒక్క డైలాగు లేకుండా చూపించాడు. సరదా కోసం పెట్టిన సీను కాదది. ఆ పడటం వల్లే గోదాము వాళ్ళ దావా మాట వస్తుంది, ఆ దావా వల్లే చెల్లెళ్ళ పెళ్ళికి కట్నం డబ్బు పుడుతుంది.

సరిగ్గా ఆ రోజుల్లోనే మద్రాసులో మనవాళ్ళూ చంద్రుణ్ణే పట్టుకున్నారు. మిస్సమ్మలో వెన్నెల్లో ఇద్దరూ ఒకరిమీద ఒకరు చందమామకి చాడీలు చెప్పే పాట నీకు నోటికి వచ్చు. పింగళి మాట, సాలూరి బాణీ, మార్కస్ బార్ట్లే కెమెరా పట్టిన వెన్నెల. కథ బయటికొచ్చింది గానీ గొడవ బయటికి పోలేదు. ఇంట్లో మూతులు ముడుచుకున్నవాళ్ళే ఇక్కడా ఉన్నారు. నీ పాటకి స్విట్జర్లాండు కావాలో, మేడమీద నీళ్ళ ట్యాంకు పక్క చోటు చాలునో ఇక నువ్వే తేల్చుకో.

లీన్ సినిమాలో శోభనం రాత్రి సీను ప్రత్యేకంగా చూడు. పెళ్ళికొడుకు భయంభయంగా ఒక్కొక్కటీ విప్పుకుంటూ కాలం గడుపుతాడు. స్టేజీమీద ఆఖరి వరసకి వినపడాలని మనం మాట పెంచుతాం. కెమెరా దగ్గర ఆ అవసరం లేదు. నీ నాటికలో అత్తగారు "నాకు అన్నీ తెలుసు" అని మూడుసార్లు అంటుంది. సినిమాలో ఆవిడ మజ్జిగ చిలుకుతూ ఒక్కసారి కవ్వం ఆపితే చాలు. ఇంకో సంగతి. నాటక పరిషత్తులో జనం నవ్వితే నటుడు ఆగుతాడు, నవ్వు తగ్గాక తర్వాతి మాట అందుకుంటాడు. థియేటర్లో బొమ్మ ఆగదు. పెద్ద నవ్వు వెనకాలే కథకి కావలసిన సమాచారం పెట్టకు, ఎవరికీ వినపడదు.

ఇవన్నీ పాతకాలం కబుర్లని ఆ నిర్మాతలు అంటారేమో. 1987లో 'అహ నా పెళ్ళంట' తీసిన రామానాయుడుగారి స్టూడియో మన ఫిల్మ్ నగర్‌లోనే ఉంది. ఆ సినిమాకి మూలం ఆదివిష్ణు నవల. దర్శకుడు జంధ్యాల నాటకాలనుంచి వచ్చినవాడు, పిసినారి లక్ష్మీపతిగా చేసిన కోట శ్రీనివాసరావూ అంతే. పెద్ద ఖర్చు లేదు. కోడిని కట్టి, దాన్ని చూస్తూ అన్నం తినే మనిషి ఇల్లు. ఆ ఇల్లు దాటి జనం ఎక్కడికీ వెళ్ళాలనుకోలేదు.

మరీ ముఖ్యమైనది. నెరేషన్‌కి వెళ్ళకముందే స్క్రిప్టు రచయితల సంఘంలో రిజిస్టర్ చేయించు. "మూలం: నాటిక" అని నీ పేరుతో టైటిల్ కార్డు పడాలని ఒప్పందంలోనే రాయించు. రీమేక్, డబ్బింగ్, ఓటీటీ హక్కులు ఎవరివో విడివిడిగా అడుగు. అడిగితే అవకాశం పోతుందని కృష్ణానగర్ గదుల్లో అవకాశాల కోసం కాచుకున్న చాలామంది నోరు మూసుకుంటారు. ఆ భయానికి లొంగకు. నిజంగా నీ కథ కావాలనుకున్నవాడు ఆ నాలుగు వాక్యాలకి పారిపోడు.

విశాఖ ఉద్యోగం, ఊటీ పెళ్ళి రెండూ కొట్టేసి, వచ్చే ఆదివారం పాత ప్రతితో రా. మీ పెద్దమ్మని కూడా కూర్చోబెట్టుకుని మొత్తం చదువుదాం. సంతకం మాత్రం అప్పటిదాకా దేనిమీదా పెట్టకు.

మీ పెదనాన్న