రొయ్యల డెవిల్డ్ ఎగ్స్ ఆర్డరు ఒప్పుకునే ముందు

పార్టీ ఆర్డర్లు చేసేవాళ్లకు ఈ మధ్య ఫోన్లో తరచూ వచ్చే ప్రశ్న ఒకటుంది: "స్టార్టర్స్‌లో కార్బ్ లేనివి ఏమున్నాయండీ?" అడిగేది ఒక్కోసారి జిమ్‌కి వెళ్లే కుర్రాడు, ఒక్కోసారి షుగరున్న పెద్దాయన కూతురు. వీరమాచనేని రామకృష్ణ చెప్పే తక్కువ కార్బ్ డైట్ తెలుగిళ్లలో చర్చకు వచ్చినప్పటి నుంచీ ఈ అడగడం ఆగలేదు. మన మెనూ కార్డు తిరగేస్తే మంచూరియా, సిక్స్‌టీఫైవ్, స్ప్రింగ్ రోల్, అన్నీ మైదాలోనో కార్న్‌ఫ్లోర్‌లోనో మునిగి లేచినవే. అలాంటి చోట రొయ్యలతో డెవిల్డ్ ఎగ్స్ చక్కగా సరిపోతాయి.

అమెరికాలో ఈస్టర్‌కీ పిక్నిక్‌లకీ ఇళ్లలో చేసుకునే చల్లటి వంటకం ఇది. ఉడికిన గుడ్డును నిలువునా రెండుగా కోసి, పచ్చసొన తీసి, అందులో కొంత కొవ్వు, పులుపు, ఘాటు కలిపి మళ్లీ అదే గుంటలో నింపుతారు. దానికి రొయ్య తోడైతే స్టార్టర్ల బల్ల మీద ఖరీదైన ఐటమ్‌లా కనిపిస్తుంది. వడ్డించేటప్పుడు పొయ్యి అక్కర్లేదు, నూనె మూకుడు అక్కర్లేదు, సగం పని ముందురోజే తెమిలిపోతుంది. ఇంటి నుంచి ఆర్డర్లు చేసేవాళ్లకీ, కేటరింగ్‌లో కొత్తగా చేరిన కుర్రాళ్లకీ ఇది నేర్చుకోదగ్గ పని.

పెద్ద గుడ్డు ఒకదానిలో పిండి పదార్థం అర గ్రాము చుట్టుపక్కల ఉంటుంది, ప్రొటీన్ ఆరు గ్రాములు. రొయ్యలో పిండి పదార్థం లేనట్టే లెక్క. అంటే ఈ ప్లేటులోకి కార్బ్ వచ్చిందంటే అది మన చేతి నుంచే వచ్చింది. ఇది చెడిపోయినా చాలాసార్లు కారణం మన చేతిలోనే ఉంటుంది.

ముందు సీసాల సంగతి. బజార్లో దొరికే ఎగ్‌లెస్ మయొనీజ్‌లో చిక్కదనం కోసం స్టార్చ్, రుచికి చక్కెర కలపడం మామూలే. ప్యాకెట్ వెనక పదార్థాల వరుస చదవకుండా "కార్బ్ లేదండీ" అని కస్టమర్‌కి చెప్పకండి. పోనీ ఇంట్లోనే పచ్చి గుడ్డుతో చేసుకుందామంటే అది అంతకన్నా పెద్ద చిక్కు. 2024 అక్టోబరు 30న తెలంగాణ ప్రభుత్వం పచ్చి గుడ్లతో చేసే మయొనీజ్‌ని ఏడాదిపాటు నిషేధించింది. 2025 ఏప్రిల్లో తమిళనాడు కూడా అదే పని చేసింది. వేడి తగలని గుడ్డులో సాల్మొనెల్లా బతికి ఉండే ప్రమాదం ఉంది, అందుకే ఆ నిషేధాలు. మీ ఊళ్లో నిషేధం ఉన్నా లేకపోయినా, పదిమందికి పెట్టే తిండిలో ఆ రిస్కు మనకెందుకు?

అసలు ఈ వంటకి మయొనీజ్ తప్పనిసరి కాదు. ఉడికిన పచ్చసొనే నూనెనీ నీటినీ కలిపి పట్టుకోగలదు. ముప్పై గుడ్ల సొన అర కిలోకి కాస్త తక్కువ ఉంటుంది. వెచ్చగా ఉన్నప్పుడే జల్లెడలో రుద్ది మెత్తగా చేసి, గుడ్డలో కట్టి నీళ్లన్నీ ఓడ్చిన గట్టి పెరుగు నూట యాభై గ్రాములు, మెత్తబడిన వెన్న యాభై, వాసన లేని నూనె యాభై వేసి కలపండి. వెన్న ఒక్కటే వేస్తే ఫ్రిజ్‌లో గట్టిపడి పైపింగ్‌కి లొంగదు, నూనె ఒక్కటే అయితే హాలు వేడికి జారిపోతుంది. అందుకే రెండూ.

ఘాటుకి ఆవపిండి. దీన్ని ముందు ఉత్త చల్లటి నీళ్లతో ముద్దగా కలిపి పది నిమిషాలు పక్కన పెట్టాలి, నిమ్మరసం ఆ తర్వాతే. పులుపు ముందే పడితే ఘాటు పూర్తిగా పుట్టదు. ఆవ పెట్టిన కూరలు చేసే చేతులకి దీని మోతాదు వేరే చెప్పక్కర్లేదు. మిరియాలు, కాస్త కారం, సన్నగా తరిగిన ఉల్లికాడలు చాలు. పచ్చి ఉల్లిపాయ వద్దు, గంటలో నీరూరి నింపినదంతా పలచబడుతుంది.

ఇక అలవాటుగా చేతిలోకి వచ్చేసేవి మూడున్నాయి. రొయ్యలకి పూసే కార్న్‌ఫ్లోర్, చిక్కదనానికి వేసే జీడిపప్పు ముద్ద, రంగుకి వేసే టమాటా కెచప్. తక్కువ కార్బ్ ఆర్డరుకి మూడూ పనికిరావు. నాలుగోది క్రాబ్ స్టిక్స్. పేరు చూసి పీత అనుకుంటారు గానీ అది తెల్ల చేప ముద్దకి స్టార్చ్, చక్కెర కలిపి ఒత్తిన సరుకు. పైగా దాన్ని పీత పేరుతో అమ్మితే కస్టమర్‌ని మోసం చేసినట్టే.

నిజం పీతతో చేయమంటే? చేయొచ్చు, అద్భుతంగా ఉంటుంది. కానీ కిలో పీతలు ఉడికించి ఒలిస్తే మాంసం పావుకిలో దొరకడం కష్టం, మనిషి కూర్చుని గంటలు ఒలవాలి. ఆ కూలి రేటులో కలిపి చెప్పండి, సగం మంది వాళ్లే రొయ్యలకి దిగుతారు.

గుడ్ల దగ్గర చాలామంది బోల్తాపడేది తాజాదనం మీద. తణుకు, అనపర్తి వైపు ఉండేవాళ్లకి ఫారం నుంచి నిన్నటి గుడ్లే దొరుకుతాయి, కానీ ఈ పనికి అవి శత్రువులు. తాజా గుడ్డులో తెల్లసొన లోపలి పొరని గట్టిగా పట్టుకుని ఉంటుంది, పెంకుతో పాటు సొనా ఊడొస్తుంది. వారం దాటిన గుడ్డులోంచి కార్బన్ డయాక్సైడ్ పెంకు రంధ్రాల గుండా కొంత బయటికి పోయి సొన క్షారగుణం పెరుగుతుంది, అప్పుడు పొర సులువుగా వదులుతుంది. కాబట్టి ఆర్డరు ఖాయం కాగానే గుడ్లు తెచ్చి ఫ్రిజ్‌లో పెట్టేయండి. ముందురోజు రాత్రి వాటిని పక్కకి పడుకోబెడితే పచ్చసొన మధ్యకి చేరుతుంది, కోసినప్పుడు ఒకవైపు అంచు పలచబడి చిరిగే బాధ తగ్గుతుంది.

ఉడకబెట్టడానికి పెద్ద గిన్నె నీళ్లకన్నా ఇడ్లీ పాత్ర మేలు. ముప్పై గుడ్లు ఒకేసారి మరిగే నీళ్లలో వేస్తే మరుగు ఆగిపోయి టైము లెక్క తప్పుతుంది, గుడ్లు ఒకదానికొకటి కొట్టుకుని పగులుతాయి. ఆవిరి బాగా పట్టాక గుడ్లు పెట్టి పన్నెండు, పదమూడు నిమిషాలు ఉంచి, వెంటనే ఐసు నీళ్లలో వేయండి. ఆవిరి వేడి ఒక్కసారిగా తగలడం వల్ల పెంకు ఒలవడమూ తేలికవుతుంది. ఎక్కువ సేపు ఉడికితే తెల్లసొనలోంచి వచ్చే గంధకం, పచ్చసొనలోని ఇనుము కలిసి ఆకుపచ్చ వలయం కడతాయి. తింటే నష్టం లేదు, కానీ సొన రంగు మసకబారి ముద్ద అందం పోతుంది. ఎంత జాగ్రత్తగా చేసినా ముప్పైలో మూడు నాలుగు చిరుగుతాయి. అరవై ముక్కలు ఒప్పుకుంటే ముప్పైనాలుగు గుడ్లు ఉడికించండి. చిరిగిన తెల్లసొన సన్నగా తరిగి ముద్దలో కలిపేస్తే వృథా ఉండదు.

రొయ్యలు కొనేటప్పుడు కౌంట్ చూసి కొనండి. ముద్దలో తరిగి వేసేవాటికి కిలోకి ఎనభై, వంద తూగే చిన్న వనామీ చాలు. పైన అలంకారానికి మాత్రం కాస్త పెద్దవి తీసుకుని, ఒక్కోదాన్ని వీపు మీదుగా నిలువునా రెండుగా చీలిస్తే సగం ఖర్చుతో అరవై ముక్కలకీ సరిపోతుంది. తలతో ఉన్న కిలో రొయ్యలు ఒలిచాక సుమారు అర కిలో మిగులుతాయి, ఉడికితే ఇంకా తగ్గుతాయి. కిలో ధరని అలాగే లెక్కలో వేసుకుంటే ముక్క రేటు సగానికి తప్పుతుంది. కొత్తవాళ్లు డబ్బు పోగొట్టుకునేది ఎక్కువగా ఇక్కడే. అరవై ముక్కలకి ఒలిచిన పచ్చి రొయ్య నాలుగు వందల గ్రాముల దగ్గర పెట్టుకోండి.

నల్ల నరం తీసి, పసుపు, ఉప్పు పట్టించి, వెడల్పాటి పెనం మీద కొద్ది నూనెతో వెల్లుల్లి, కరివేపాకు వేసి పెద్ద మంట మీద రెండు మూడు నిమిషాలు వేయించండి. రొయ్య వంగి, లోపలి దాకా తెల్లబడగానే దించాలి. గుండ్రంగా బిగుసుకుపోయే దాకా ఉంచితే రబ్బరే. ఫ్రోజెన్ రొయ్యలైతే ముందురాత్రి ఫ్రిజ్‌లోనే కరగనిచ్చి, నీళ్లు పిండి, గుడ్డతో ఒత్తాలి. వేయించాక జల్లెడలో ఆరనిచ్చి, పూర్తిగా చల్లారిన తర్వాతే సొన ముద్దలో కలపండి. తడి రొయ్య కలిపిన ముద్ద గంటలో నీరు వదిలి, తెల్లసొన గుంటలోంచి జారుతుంది.

ఎవరూ అడగకపోయినా నేను చెప్పే మాట: ఎండు రొయ్యల పొడి కొంచెం వేయండి. తలలు, తోకలు తీసి, వట్టి మూకుడులో దోరగా వేయించి, మెత్తగా పొడి కొట్టినది. నీరుండదు, కార్బ్ ఉండదు, చెంచాడు వేస్తే అర కిలో పచ్చి రొయ్య ఇవ్వలేని వాసన ఇస్తుంది. ఉప్పు మాత్రం చూసుకోవాలి, ముద్దలో వేసేది సగం తగ్గించండి.

అసలైన పరీక్ష రవాణా. నింపిన గుడ్లని కారులో తీసుకెళ్లడం అంటే దారిలో ప్రతి స్పీడ్ బ్రేకర్ దగ్గరా పళ్లు బిగబట్టుకోవడమే. తెల్లసొన డొప్పల్ని తడిపి పిండిన గుడ్డ పరిచిన మూత డబ్బాలో, ముద్దని మందపాటి కవర్లో, పైన పెట్టే రొయ్యల్ని వేరే డబ్బాలో వేసి, అన్నీ ఐస్ బాక్సులో పెట్టుకెళ్లండి. డొప్ప అడుగున పలచగా ఒక చెక్కు తీస్తే పళ్లెంలో దొర్లదు. వడ్డనకి అరగంట ముందు కవరు మూల కత్తిరించి, గోరింటాకు కోన్ పట్టుకున్నట్టు నొక్కుతూ నింపేయవచ్చు. ఇద్దరుంటే అరవై ముక్కలు పెద్ద పని కాదు.

బల్ల మీద ఎంతసేపు ఉంచాలన్నది మన బాధ్యతే. ఏసీ హాల్లో రెండు గంటలు, మే నెల విజయవాడలో లాన్ మీదైతే ఒక్క గంట. అందుకే అరవై ఒకేసారి పెట్టకుండా ఇరవై చొప్పున ఐసు మీద నుంచి తీయండి. ముద్ద ముందురోజు సాయంత్రం కలిపినది సరే, అంతకన్నా ముందుది వద్దు.

ఆర్డరు తీసుకున్నప్పుడే వాట్సాప్‌లో రాతపూర్వకంగా అడగాల్సింది ఒకటుంది: వచ్చేవాళ్లలో రొయ్య, గుడ్డు, పాలు పడనివాళ్లు ఉన్నారా అని. రొయ్య అలర్జీ ఒంటి దురదతో ఆగకుండా ఊపిరి దాకా పోవచ్చు. పళ్లెం ముందు "రొయ్య, గుడ్డు, పెరుగు, ఆవ ఉన్నాయి" అని చీటీ పెట్టండి. "షుగరు వాళ్లు ఎన్నైనా తినొచ్చు" లాంటి మాటలు మాత్రం మన నోట రాకూడదు. ముక్కలో ఏమేం వేశామో చెప్పడం మన పని, ఎన్ని తినాలన్నది వాళ్లకీ వాళ్ల డాక్టరుకీ సంబంధించిన విషయం. ఇంటి నుంచి వండి అమ్మేవాళ్లకీ ఎఫ్ఎస్ఎస్ఏఐ రిజిస్ట్రేషన్ ఉండాలి. పెద్ద ఆఫీసుల ఆర్డర్లలో మొదట అడిగేది ఆ నంబరే.

కార్తీకంలో ఈ ఐటమ్‌కి పెద్దగా గిరాకీ ఉండదు. కొత్త ముద్దలు ప్రయత్నించుకోవడానికి, ఇంట్లో తినేవాళ్లుంటే, అదే మంచి సమయం.

చివర్లో ఇంటివాళ్లు మిగిలినవి ప్యాక్ చేయమంటారు. ఐసు మీదే ఉండి, ఇంకా నింపని డొప్పలూ ముద్దా అయితే నిరభ్యంతరంగా ఇచ్చి, ఫ్రిజ్‌లో పెట్టుకుని మర్నాడే తినేయమని చెప్పండి. బల్ల మీద రెండు గంటలున్న ప్లేటు మాత్రం వాళ్ల కళ్ల ముందే తీసేయండి. "డబ్బులిచ్చాం కదా" అని ఒకరిద్దరు నొచ్చుకుంటారు, నొచ్చుకోనివ్వండి.