హాజరు తగ్గితే హైకోర్టు ఏం చేయగలదు?

పరీక్షలకు కొద్ది రోజుల ముందు, హాజరు చాలక పరీక్ష రాయనివ్వని వారి డిటైన్ జాబితా నోటీసు బోర్డు ఎక్కగానే చాలామంది విద్యార్థులకు వచ్చే మొదటి ఆలోచన కోర్టుకు వెళ్దామని. వెళ్లొచ్చు. రాజ్యాంగంలోని 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేసే హక్కు విద్యార్థికీ ఉంది. అయితే మీకు లేని హాజరును కోర్టు తెచ్చివ్వదు. కాలేజీ తన నిబంధనలను తాను పాటించిందా, మీ కారణాన్ని సరిగ్గా విన్నదా అన్నదే ప్రధానంగా చూస్తుంది. కాబట్టి కేసు బలం చాలావరకు మీ కాగితాల మీదే ఆధారపడుతుంది.

ముందు మీ కోర్సు నిబంధనావళి తెరవండి. హైదరాబాద్ జేఎన్‌టీయూ బీటెక్‌లో సెమిస్టర్‌కు అన్ని సబ్జెక్టులూ కలిపి 75 శాతం హాజరుండాలి. 65 నుంచి 75 మధ్య ఉంటే తగిన కారణం, ఆధారాలు చూపి, ఫీజు కట్టి మినహాయింపు కోరవచ్చు. 65 కంటే తగ్గితే మినహాయింపు లేదు. 64 శాతం ఉన్న విద్యార్థికి ప్రిన్సిపాల్ జాలిపడినా చేయగలిగింది తక్కువ. 68 ఉన్న విద్యార్థి దరఖాస్తును కారణం చెప్పకుండా పక్కన పడేస్తే మాత్రం కోర్టులో అడగడానికి గట్టి ప్రశ్న ఉంటుంది.

లా విద్యార్థుల సంగతి వేరు. 2016లో ఢిల్లీలో హాజరు చాలదని పరీక్షలు రాయనివ్వకపోవడంతో ఒక లా విద్యార్థి ప్రాణం తీసుకున్నాడు. సుప్రీంకోర్టు దాన్ని తానుగా విచారణకు స్వీకరించి, తర్వాత ఢిల్లీ హైకోర్టుకు పంపింది. 2025 నవంబరులో ఆ కోర్టు, హాజరు లేదన్న ఒక్క కారణంతో ఏ లా విద్యార్థినీ పరీక్షకు దూరం చేయరాదని తీర్పిచ్చింది. ప్రతి వారం హాజరు వివరాలు ప్రకటించాలని, ప్రతి నెలా తల్లిదండ్రులకు తెలపాలని, తక్కువైన వారికి అదనపు తరగతులు పెట్టాలని చెప్పింది. ఒక నిండు ప్రాణం పోయాక, తొమ్మిదేళ్లకు వచ్చిన మాటలివి. ఇంజినీరింగ్, ఫార్మసీ విద్యార్థులు ఇది తమకూ వర్తిస్తుందని ధీమాగా ఉండకూడదు. లా విద్యార్థులు కూడా ఆ తర్వాతి పరిణామాలను న్యాయవాదిని అడిగి తెలుసుకోవాలి.

కారణం నిజమైనదైనా ఫలితం ఒకేలా ఉండదు. గర్భం వల్ల తరగతులకు రాలేకపోయిన ఢిల్లీ విశ్వవిద్యాలయ లా విద్యార్థినులకు 2010లో ఢిల్లీ హైకోర్టు సింగిల్ జడ్జి అండగా నిలిచారు. 2018లో అదే కారణంతో వెళ్లిన మరో విద్యార్థినికి, లా కోర్సులకు వర్తించే బార్ కౌన్సిల్ నిబంధనలను సడలించలేమంటూ అదే కోర్టు ఊరట ఇవ్వలేదు.

అందుకే జబ్బు చేసిన వారంలోనే ప్రిన్సిపాల్‌కు లిఖితపూర్వకంగా తెలపండి, కాపీ మీద ముద్ర, తేదీ వేయించుకోండి. ఆస్పత్రి డిశ్చార్జి సమ్మరీ, పరీక్షల రిపోర్టులు, బిల్లులు దాచండి. పరీక్ష ముందు రోజు తెచ్చిన మెడికల్ సర్టిఫికెట్‌ను కాలేజీ నమ్మదు, కోర్టూ నమ్మదు. ఎన్‌సీసీ క్యాంపులు, యూనివర్సిటీ క్రీడల రోజులు హాజరులో కలిశాయో లేదో పోర్టల్‌లో ప్రతి నెలా చూసుకోండి. పొరపాటుంటే అప్పుడే రాతపూర్వకంగా అడగండి.

పిటిషన్‌లో కాలేజీతో పాటు యూనివర్సిటీని కూడా ప్రతివాదిగా చేర్చాలి. హాల్‌టికెట్ ఇచ్చేది కాలేజీ అయినా నిబంధన యూనివర్సిటీది. పరీక్ష రాయనివ్వమని మధ్యంతర ఉత్తర్వు వచ్చినా అది తుది తీర్పుకు లోబడే ఉంటుంది, ఫలితాన్ని ఆపి ఉంచవచ్చు. ప్లేస్‌మెంట్ వచ్చి ఉంటే ఈ సంగతి కంపెనీ హెచ్‌ఆర్‌కు ముందే చెప్పడం మంచిది.

లాయర్ ఫీజు కట్టలేమని ఆగిపోనక్కర్లేదు. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు, నిర్ణీత పరిమితి కంటే తక్కువ ఆదాయం ఉన్నవారికి న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా న్యాయవాదిని ఇస్తుంది. జాబితాలో పేరు చూసి కుంగిపోతుంటే, ఇంట్లో చెప్పలేకపోతుంటే 14416 టెలి మానస్‌కు ఫోన్ చేయండి. అక్కడ తెలుగులో మాట్లాడతారు.

కేసు నడుస్తుండగానే రీఅడ్మిషన్ గడువు ఎప్పుడో కనుక్కోండి. డిటైన్ అయితే పోయేది ఆ సెమిస్టరే, అంతకు ముందు పాసైన సబ్జెక్టులు కాదు. తీర్పు కోసం ఎదురుచూస్తూ ఆ తేదీ దాటితే మాత్రం మరో ఏడాది పోతుంది.